వెలిగే మంచు మీద గోనెసంచి

మా ఆయన ఐసు ఫ్యాక్టరీలో ఆపరేటరు. వేటకెళ్ళే పడవలకు ఐసు దిమ్మలు తీసి ఇవ్వడం ఆయన పని. పగలంతా దిమ్మలు గడ్డకట్టే ఉప్పునీళ్ళ తొట్టి పక్కన నిలబడ్డ మనిషి, ఇంటికొచ్చి మళ్ళీ మంచు గురించే రాసేవారు. ఎక్కడా లేని ఒక లోకం. అక్కడ కొండల మధ్య నుంచి ఒక మంచు నది మెల్లగా దిగుతూ ఉంటుంది. చీకటి పడితే దానంతటదే వెలుగుతుంది. పొడుగు నోటుపుస్తకాలు రెండు నింపారు.

నేను గ్రంథాలయంలో పనిచేశాను. నాలుగు పుస్తకాలు చదివినవాళ్ళకుండే పొగరు నాకూ ఉంది. "మంచు వెలగడమేటి? ఫ్యాక్టరీ గురించి రాయొచ్చు కదా మీరు" అన్నాను ఒకసారి.

"ఫ్యాక్టరీలో ఏటున్నాది రాయడానికి?" అన్నారు.

ఆయన రాతలో ఆ వెలుగు అందం కోసం ఉండదు. ఆ లోకంలో జనానికి అదొక బాధ. ఎప్పుడు కూయాలో తెలియక కోళ్ళు కూయడం మానేశాయి. తాగి ఇంటికొచ్చేవాడికి దాక్కోడానికి చీకటి లేదు. మంచు నది పక్కనే ఇల్లున్న ఒకతని భార్యకి నిద్ర పట్టదు. అందుకని అతను సాయంత్రం కాగానే ఇంటికి ఎదురుగా ఉన్న మంచు మీద గోనెసంచులు కప్పుతాడు. మంచు కదులుతుంది కాబట్టి సంచులు కూడా దానితో దిగువకు పోతాయి. పొద్దున్నే వెళ్ళి వెనక్కి తెచ్చుకుంటాడు. సాయంత్రం మళ్ళీ కప్పుతాడు. అంతే కథ.

పోయిన ఏడాది ఆయన జ్వరంతో పోయారు. మావైపు సంవత్సరీకం భోజనాలకు వచ్చినవాళ్ళకు పోయినవాళ్ళ పేరు కొట్టించిన స్టీలు డబ్బా ఇవ్వడం ఇప్పుడు ఆచారమైంది. మా వీధిలో పోయినవాళ్ళంతా మా వంటింట్లో పప్పులకు కాపలా కాస్తున్నారు. నేను డబ్బా వద్దన్నాను. ఈ గోనెసంచుల కథని చిన్న పుస్తకంగా వేయిస్తానన్నాను. మా ఆడపడుచు భర్త రిటైరైన తెలుగు మాస్టారు. అచ్చుపని తను చూసుకుంటానన్నారు, ముందుమాట కూడా తనే రాస్తానన్నారు. ఎవరూ అడగలేదు.

ప్రూఫులు వచ్చాయి. మాస్టారు ఆ మంచులో తామరలు పూయించారు. హంసల్ని దించారు. వాటికి చలేస్తుందని ఆయనకు తోచలేదు. గోనెసంచి లేదు. దాని చోట "వెన్నెలను తలపించు పట్టుతెర" ఉంది. ఫోన్ చేశాను.

"కథలో గోనిసంచేటమ్మా? సదివినోళ్ళు నవ్విపోరా? ఆడు నాకు బావమరిదమ్మా. ఆడి పరువు నాను కాపాడొద్దా?" అన్నారు. సభలో ఆయన నోట సమాసం తప్ప మాట రాదు. ఇంట్లో మాత్రం మనలాగే మాట్లాడతారు.

ఆ పూట నాకు పోట్లాడే ఓపిక లేకపోయింది. ఎలా ఉంటే అలా వెయ్యనీ అనుకున్నాను.

మర్నాడు పొద్దున్న చేపలమ్మే ఆవిడ గుమ్మంలో గంప దించింది. ఆయన ఉన్నప్పుడు విరిగిన ఐసు ముక్కలు ఆవిడ గంపలో వేసేవారు. ఆవిడకి చదువు రాదు. "ఆయనేటి రాసినాడో సదువప్పా, ఇంటాను" అంది. ప్రూఫు చదివాను. తామరలకు ఊరుకుంది. పట్టుతెర దగ్గర ఆపింది.

"మంచు మీద పట్టుగుడ్డేటప్పా? తడిసి ముద్దయిపోద్ది. ఆయన ఐసు మనిసి. గోనే కప్పుంటాడు."

"గోనెనే రాశారు. మాస్టారు మార్చారు."

"ఆడెప్పుడైనా ఐసు మోసేడేటి?" అని మా కిటికీ వైపు చూసింది. "మీ కిటికీకీ గోనుండేది కదా. ఫ్యాక్టరీ లైటు నీ మొగాన కొడతాదని ఆయన కట్టినాడు. అదీ మాస్టరే తీసినాడా?"

తీసింది నేను. ఫ్యాక్టరీ ఆవరణలో స్తంభం మీది లైటు సరిగ్గా మా మంచం మీద పడేది. నిద్ర పట్టడం లేదని పెళ్ళయిన కొత్తలో నేను గొడవ పెడితే, ఆయన నాలుగు మేకులు కొట్టి గోనె కట్టారు. చుట్టాలొస్తున్నారంటే నేను దాన్ని తీసి మంచం కింద దాచేదాన్ని. వాళ్ళు వెళ్ళాక ఆయన మళ్ళీ కట్టేవారు. ఆయన పెద్దదినానికి నలుగురూ వస్తారని మళ్ళీ తీసి, పువ్వుల కర్టెను వేశాను. తర్వాత కట్టడానికి ఆయన లేరు. అలంకారం గిట్టదని ఊరంతా చెప్పుకు తిరిగే మనిషిని నేను.

నోటుపుస్తకంలో ఆ కథని రెండుసార్లు చదివాను. కోళ్ళ దగ్గర నవ్వాను కూడా. నిద్ర పట్టని ఆ భార్య ఎవరో చేపలావిడ చెప్తేగాని తెలియలేదు.

శ్రీకాకుళం బస్సెక్కాను. ప్రెస్సులో కూర్చుని హంసల్నీ తామరల్నీ కొట్టేసి, గోనెసంచుల్ని ఒక్కొక్కటే వెనక్కి తెచ్చాను. ప్రెస్సతను "పట్టుతెర బాగుందండీ" అన్నాడు జాలిగా. ముందుమాట జోలికి పోలేదు. అది మాస్టారిది, ఆయన ఇష్టం.

సంవత్సరీకం నాడు మాస్టారు ముందుమాట లేచి చదివారు. మా ఆయన ప్రతిభకు ఆ పట్టుతెర ఒక్కటి చాలునట. చేపలావిడ నా చెవి దగ్గరకొచ్చింది. "ఈ పట్టింకా ఉన్నాదేటప్పా?"

"మాస్టారి నోట్లోనే" అన్నాను.

భోజనాలయ్యాక మాస్టారు చేతిలో పుస్తకంతో గదిలోకి వచ్చారు. కిటికీ చూసి ఆగిపోయారు. "అదేటమ్మా, గోని? ఇంటినిండా సుట్టాలున్నారు. తీసెయ్యరాదా?"

"పుస్తకంలో ఉందన్నయ్యా."

"సదివేనమ్మా, సదివేను. సేనా బాగొచ్చింది" అన్నారు.

నాలుగు మేకుల్లో రెండు ఎప్పుడో ఊడిపోయాయి. ఉన్న రెండింటికే కట్టాను. ఒక మూల వేలాడుతోంది. చుట్టాలందరూ చూశారు. తియ్యలేదు.