పెళ్ళి పడవ ఎక్కిన లువా

లువాకి పెళ్ళి పడవ నడపడమంటే మహా సరదా. రాచ్‌జా పట్టణానికి ఎగువన, కాయ్ లొన్ నది మీద ఆమెది రేవు దాటించే పని. పొద్దున లేస్తే బస్తాలు, పందిపిల్లలు, సైకిళ్ళు, స్కూలు పిల్లలు. ఆ రోజుల్లో నవ్వే మొహం కనబడటమే గగనం. యుద్ధం ముగిసి నాలుగేళ్ళయినా ఎవరి ఇంట్లో చూసినా ఒకడు జైల్లోనో కొత్త సర్కారు శిబిరంలోనో ఉండేవాడు. అందుకే బియ్యం మర హొవాన్ వచ్చి, "ఏడో అక్కా, మా చెల్లెలి కూతురి పెళ్ళి. మగపెళ్ళివారి ఊరు నది మొగ దగ్గర. పడవ నువ్వే నడపాలి" అన్నప్పుడు ఆమె ఎగిరి గంతేసింది.

ఏడో అక్క అంటే ఊరు ఊరంతా పిలిచే పిలుపు. ఇంట్లో ఆరో సంతానం. పెద్దవాణ్ణి దయ్యాలు గుర్తుపట్టకూడదని అక్కడ లెక్క రెండు నుంచి మొదలెడతారు కాబట్టి ఏడోది అయింది. వయసు ముప్ఫై మూడు. మొగుడు థేమ్ వడ్రంగి, నెమ్మదైన మనిషి. ఆరేళ్ళ కూతురు మెన్ మాత్రం వాగుడుకాయ.

పంతొమ్మిది వందల డెబ్భై తొమ్మిది ఏప్రిల్‌లో ఒక ఆదివారం పొద్దున, కొబ్బరాకుల కమాను కట్టి ఎర్రగుడ్డలు చుట్టిన పడవలో ఇరవై ఇద్దరు పెళ్ళివారు ఎక్కారు. ఎర్రటి పళ్ళేలు, టీ కూజాలు, నిలువునా కాల్చిన పంది, అన్నీ ఉన్నాయి. మెన్ గట్టు మీద నిలబడి పెళ్ళికూతురి తలపాగా చూసి చప్పట్లు కొట్టింది. థేమ్ ఉలి పట్టుకునే చెయ్యి ఊపాడు.

మూడు వంపులు తిరిగేసరికి లువాకి ఏదో తేడాగా తోచింది. ఎండ మండిపోతుంటే పెళ్ళివారిలో ముసలామె తొమ్మిదో అవ్వ ఒకదాని మీద ఒకటి మూడు చొక్కాలు తొడుక్కుని కూర్చుంది. పిల్లలందరూ ఎవరో మందు పెట్టినట్టు ఒకేసారి గాఢనిద్రలో ఉన్నారు. అందరికంటే వింత పెళ్ళికూతురు థోవాది. పట్టు చొక్కా అంచుతో ముక్కు తుడుచుకుంటుంటే పెళ్ళికొడుకు లిన్ ఆమె నెత్తిన మొట్టాడు.

"ఛీ, మురికిదానా! అమ్మతో చెప్తానుండు."

"చెప్పుకో పో! నువ్వు కాలు తొక్కావని నేనూ చెప్తా."

లువా చుక్కాని వదలకుండా వెనక్కి వంగింది. "హొవాన్ అన్నా, వీళ్ళు పెళ్ళికొడుకూ పెళ్ళికూతురా, అన్నాచెల్లెళ్ళా?"

హొవాన్ మొహం పిండికొట్టినట్టు తెల్లబోయింది. వేరే చెప్పనక్కరలేదు. ఆ సంవత్సరం ఆ నది మీద దొంగచాటుగా దేశం వదిలి సముద్రం వైపు పోయేవాళ్ళ కథలు లువా కొత్తగా వినాలా? పడవ తిప్పేద్దామా అనుకునేలోపే ఎదురుగా తనిఖీ రేవు వచ్చేసింది. తుపాకులు వేసుకున్న ఇద్దరు కాపలావాళ్ళు ఆపమని చెయ్యెత్తారు.

పెద్దవాడు పడవ అంతా కలయజూశాడు. "పెళ్ళికూతురు ఏడుస్తోందేం?"

నోరు తెరిచింది లువానే. తెరిచాకగానీ తనకే తెలియలేదు. "పెళ్ళికూతురు ఏడవకుండా పోతే ఊరు నవ్వదూ?"

"మరి పెళ్ళికొడుకు ఆ పక్కకి చూడడేం?"

"ఆ పక్క అత్తగారు కూర్చుంది బాబూ. నువ్వైతే చూస్తావా?"

తొమ్మిదో అవ్వ టక్కున అందుకుంది. "ఏమే పడవదానా, నా గురించి ఊరందరికీ చాటాలా? ఇదిగో అబ్బాయిలూ, మీరే చెప్పండి, నేను గయ్యాళిలా ఉన్నానా?"

కాపలావాళ్ళు పగలబడి నవ్వారు. హొవాన్ పంది తొడ ఒకటి కోసి అరిటాకులో చుట్టి ఇచ్చాడు. "కాపురం చల్లగా ఉండాల" అని దీవించి వదిలేశారు. మలుపు తిరిగేదాకా పడవలో ఒక్కళ్ళూ ఊపిరి పీల్చలేదు. తర్వాత అందరూ ఒకేసారి పీల్చారు.

"నన్నెందుకు లాగావు అన్నా ఇందులోకి?" లువా పళ్ళు కొరికింది.

"మమ్మల్ని మొగ దగ్గర దింపి నువ్వు వెళ్ళిపోవచ్చమ్మా. నీకేం తెలీదు. నువ్వు పెళ్ళికొచ్చావు, అంతే."

నది మొగలో నీటి తాటిచెట్ల గుబురు వెనక పెద్ద పడవ దాగి ఉంది. పెద్దదంటే పన్నెండు మీటర్లు. అప్పటికే అందులో ముప్ఫై మంది ముడుచుకుని కూర్చుని ఉన్నారు. ఇంజిన్ ఉంది, నూనె ఉంది, నీళ్ళ పీపాలున్నాయి. నడిపేవాడు లేడు. ఆ ముసలి జాలరిని తెల్లవారగానే పోలీసులు ఇంట్లోంచి పట్టుకుపోయారని పడవలోవాళ్ళు ఏడుస్తూ చెప్పారు. ఆ చెప్పడం పూర్తికాకముందే నది ఎగువ నుంచి గస్తీ పడవ మోత వినిపించింది.

హొవాన్ మోకాళ్ళ మీద పడ్డాడు. "తల్లీ, నువ్వే దిక్కు!"

"నాకు తెలిసింది నది అన్నా! సముద్రం ఎలా ఉంటుందో కూడా చూళ్ళేదు!"

తొమ్మిదో అవ్వ అప్పటికే పెద్ద పడవలోకి పాకేసింది. "నదే కదే వెళ్ళి సముద్రంలో పడేది! దాని వెనకే పో!"

తర్వాతి కాలంలో ఎవరడిగినా లువా ఒకటే చెప్పేది. వెనక్కి పోతే తనిఖీ రేవులో "పెళ్ళివారేరి?" అని అడుగుతారు కదా, జైలే కదా, అందుకని వెళ్ళానని. నిజమే. కానీ థేమ్‌తో మాత్రం, ఎన్నో ఏళ్ళ తర్వాత, అసలు సంగతి ఒప్పుకుంది. ఆ ఆలోచనలన్నీ తర్వాత వచ్చాయి. పెళ్ళివారంతా పళ్ళేలతో సహా పెద్ద పడవలోకి దూకి, యాభై రెండు మొహాలు తనవైపు తిరిగేసరికి, ముందు చెయ్యి దాని చుక్కాని మీద పడింది. బుద్ధి దాని వెనక పరిగెత్తింది.

గోధుమరంగు నీళ్ళు పచ్చబడ్డాయి, పచ్చనివి నల్లటి నీలంగా మారాయి. గట్టు సన్నటి గీతయి, ఆ గీత కూడా చెరిగిపోయింది. మెన్‌కి మధ్యాహ్నం అన్నం ఎవరు పెడతారన్న ఆలోచన వచ్చి లువాకి కళ్ళు మసకబారాయి. సరిగ్గా అప్పుడే ఇంటెత్తు కెరటం ఒకటి లేచి ఏడుపుని మింగేసింది. పెద్ద ధాన్యం పడవ దాటిపోయినప్పుడు నదిలో లేచే అలని ఎలా తీసుకుంటుంది? ఎదురుగా కాదు, పక్కకీ కాదు, ఏటవాలుగా. అలాగే తీసుకుంది. పడవ లేచింది, దిగింది, ముక్కలవలేదు! "వచ్చింది! నాకొచ్చింది!" అని ఆమె కేక పెట్టింది. భయంతో బిగుసుకుపోయిన జనం కూడా ఆ కేకకి నవ్వారు.

దిక్సూచి ఉంది గానీ లువాకి చూడటం రాదు. పడవలోవాళ్ళలో లెక్కల మాస్టారు దియెప్‌కి వచ్చు గానీ ఆయనకి సముద్రం పడదు. కాబట్టి ఆ నాలుగు రోజులూ ఆయన ఆమె కాళ్ళ దగ్గర కూర్చుని దిక్కు చెప్పడం, పడవ అంచు మీదకి వంగి కక్కడం.

"దక్షిణం... కొంచెం పడ..."

"మాస్టారూ, ముందు దిక్కు పూర్తిగా చెప్పి తర్వాత కక్కండి! పడమరా, పడిపోవాలా?"

రెండో రోజు మూడు ఓడలు కనిపించాయి. ఎర్రగుడ్డలు ఊపారు, గొంతులు చించుకున్నారు. మేడంతటి ఓడలు, ఆగకుండా పోయాయి. మూడో రోజు పీపాలు అడుగంటాయి. పిల్లల పెదవులు పగిలాయి. అప్పుడు దక్షిణాన మబ్బు పట్టింది. లువా దిక్సూచిని పక్కన పెట్టించి పడవని ఆ మబ్బు కిందికే పరిగెత్తించింది. వాన దబదబా కురిసింది. పెళ్ళి పళ్ళేలు, టీ కూజాలు, పెళ్ళికూతురి తలపాగా, ఏది దొరికితే అది పట్టారు. నోళ్ళు తెరిచి ఆకాశంలోకి నవ్వారు. థోవా, లిన్ ఎవరి కూజా ముందు నిండిందని మళ్ళీ కొట్టుకున్నారు.

ఆ సాయంత్రమే ఒక థాయ్ చేపల పడవ తిన్నగా వాళ్ళవైపు వచ్చింది. సముద్రపు దొంగల సంగతి అందరూ విన్నవాళ్ళే. ఆడవాళ్ళు ఇంజిన్ మసి తీసి మొహాలకి పూసుకున్నారు. లువా చేతిలో రెంచి పట్టుకుని నిలబడింది. ఆ పడవలోంచి బట్టతల మనిషి ఒకడు వీళ్ళని చూసి, జాలిగా నాలుక చప్పరించి, రెండు బుట్టల చేపలు, గోనెడు ఐసు ఇటు విసిరాడు. దక్షిణానికి చెయ్యి చూపించి, ఇంకా నాలుగు పూటలని నాలుగు వేళ్ళెత్తి చూపి, దణ్ణం పెట్టి వెళ్ళిపోయాడు. మసి మొహంతో నోట్లో ఐసుముక్క వేసుకుని తొమ్మిదో అవ్వ, "ఇంత అందం పాడుచేసుకున్నాం, అనవసరంగా" అంది. అందరికీ అలాంటి మనిషే ఎదురుపడలేదని వాళ్ళకి తర్వాత తెలిసింది.

అయిదో రోజు పొద్దున కొండలు, కొబ్బరిచెట్లు, తెల్లటి ఇసుక. మలేషియా! అంతలో ఒక కాపలా పడవ అడ్డొచ్చింది, అందులోవాళ్ళు వెనక్కి పొమ్మని చేతులూపారు. సముద్రంలోకి ఈడ్చుకుపోతారని మాస్టారు గొణిగాడు.

"అవ్వా, పట్టుకో! అందరూ పట్టుకోండి!" లువా ఇంజిన్‌ని పూర్తి వేగంతో వదిలింది. కాపలా పడవ చుట్టు తిరిగి వచ్చేలోపు ఆమె దాని పక్కనుంచి దూసుకుపోయి, కెరటం వీపు మీద ఎక్కి, పడవని ఇసుకలోకి గుద్దింది. అడుగు పలకలు ఫటఫటా విరిగాయి. ఇక వెనక్కి తోయడానికి పడవంటూ లేదు. యాభై ముగ్గురూ మోకాలి లోతు నీళ్ళలో పడుతూ లేస్తూ ఒడ్డుకి పరిగెత్తారు. లువా ఇసుకలో బోర్లా పడి, రెండు చేతులా దాన్ని పట్టుకుని, అలాగే కాసేపు నవ్వింది, కాసేపు ఏడ్చింది.

అక్కణ్ణుంచి వాళ్ళని చేర్చిన బిడాంగ్ దీవి శరణార్థి శిబిరంలో వేలమంది. కొండవాలు నిండా కర్రలు, నీలం పట్టాలతో కట్టిన గుడిసెలు. లువా మొదటి రోజే ఇంటికి ఉత్తరం రాసింది. రోజూ మైకులో ఉత్తరాలొచ్చినవాళ్ళ పేర్లు చదివేవారు. మూడో నెలలో ఆమె పేరు పలికింది. నీళ్ళ వరసలో నిలబడే కవరు చించి, ఏడుపు ఆపుకోలేక మాస్టారికిచ్చి చదవమంది. థేమ్ రాసింది ఆయన బిగ్గరగా చదివాడు.

"నువ్వు పోయావనుకుని నలభై తొమ్మిదో రోజు కర్మ కూడా చేసేశాను. రెండు కోళ్ళు దండగ. నీ ఉత్తరం చూసి మెన్ రేవంతా పరిగెత్తి మా అమ్మ బతికుందని అరిచింది. నేను దాని నోరు మూశాను, పోలీసులు వింటారని. తర్వాత ఇంట్లోకెళ్ళి నేనూ అరిచాను."

వరసలో ఉన్న వంద మంది బిందెలు కొట్టి గోల చేశారు.

ఆస్ట్రేలియా అధికారి ముందు కూర్చున్నప్పుడు, "దేశం ఎందుకు వదిలారు?" అని దుబాసీ అడిగాడు.

"వదల్లేదండీ. పెళ్ళికొచ్చాను."

దుబాసీ కలం ఆగిపోయింది. "ఏడో అక్కా, ఇది నవ్వులాట కాదు."

"నవ్వులాటని నేనన్నానా? కావాలంటే మా పెళ్ళివారిని అడగండి. బయటే ఉన్నారు."

నిజంగానే ఉన్నారు. లోపలికి రానివ్వకపోతే కిటికీలోంచి ఒకరి మీద ఒకరు పడి సాక్ష్యం చెప్పారు. అధికారి మొత్తం విని, చేతులు నలుపుకుని, ఆమె కాగితం మీద ముద్ర వేశాడు. మొగుడినీ కూతుర్నీ పిలిపించుకునే దారి ఉంటుందని కూడా చెప్పాడు. లువా ఆ ఒక్క మాట పట్టుకుంది.

మెల్‌బోర్న్‌లో పళ్ళు డబ్బాల్లో నింపే ఫ్యాక్టరీలో చేరింది. పగలు పీచ్ పళ్ళు, సాయంత్రం ఇంగ్లీషు క్లాసు, ఆదివారం దరఖాస్తులు. ఒక కాగితం తప్పయితే ఇంకోటి పంపేది. రాచ్‌జాలో థేమ్ కూడా ఆఫీసు మెట్లు అరగదీశాడు. నాలుగేళ్ళు పట్టింది.

ఎనభై నాలుగు మార్చిలో విమానాశ్రయానికి లువా ఒక్కతే వెళ్దామనుకుంది. మెల్‌బోర్న్‌కే చేరిన పడవ జనం పంతొమ్మిది మంది వెంట వచ్చారు. కర్ర పట్టుకుని తొమ్మిదో అవ్వ, కోటు వేసుకుని మాస్టారు, చంకలో బిడ్డతో థోవా, ఈసారి నిజం మొగుడితో. తలుపులు తెరుచుకున్న ప్రతిసారీ అందరూ ముందుకి తూలేవారు. అరగంట గడిచాక చెక్క పెట్టె మోసుకుంటూ నెరిసిన జుట్టు మనిషి, పక్కన పొడుగాటి పిల్ల వచ్చారు. లువా కాళ్ళు కదల్లేదు. అవ్వ కర్రతో వెనకనుంచి పొడిచింది. "పోవే! సముద్రం దాటినదానివి, ఈ గచ్చు దాటలేవా?"

థేమ్ పెట్టె కింద పెట్టి ఆమె చెయ్యి పట్టుకుని, "చిక్కిపోయావే" అన్నాడు.

మెన్ మాత్రం తల్లిని పైనుంచి కిందకి చూసింది. పదకొండేళ్ళది. ఊళ్ళో వాగుడంతా విమానంలో వదిలేసినట్టు నిలబడింది. చివరికి చిన్నగా అడిగింది. "అమ్మా, పెద్ద పడవని ఇసుకలోకి గుద్దేశావంట. నిజమేనా?"

లువా నోరు తెరిచేలోపే పంతొమ్మిది గొంతులు లేచాయి. మాస్టారు కెరటాలు చేతులతో చూపిస్తున్నాడు. థోవా మసి పూసుకోవడం అభినయిస్తోంది. అవ్వ కాపలావాళ్ళ మాట దగ్గర మొదలెట్టి, "కాదు కాదు, ముందు పంది సంగతి చెప్పాలి" అని మళ్ళీ మొదటికొచ్చింది. విమానాశ్రయం ఉద్యోగి వచ్చి మెల్లగా మాట్లాడమన్నాడు. ఎవరూ వినలేదు. మెన్ తల్లి చెయ్యి పట్టుకుని, ఇటూ అటూ తిరిగి చూస్తూ, "తర్వాత? తర్వాత?" అని అడుగుతూనే ఉంది.

మర్నాడు లువా పనికి వెళ్ళలేదు. థేమ్ వంటింటి తలుపు ఒరుసుకుంటోందని పొద్దున్నే చిత్రిక పట్టాడు. మెన్ మధ్యాహ్నం దాకా ఆపకుండా మాట్లాడింది.