మిషనమ్మ బండిలో పోయిన చప్పుడు

మా వీధిలో ఆవిడను మిషనమ్మ అంటారు. వీధి వైపు గదిలో కిటికీ పక్కన కుట్టు మిషను, దాని మీద నూనె డబ్బా, సుద్దముక్క, రంగురంగుల దారపు ఉండలు. ఆవిడ కుట్టిన బట్ట ఒక్కసారైనా తొడుక్కోని మనిషి ఈ వీధిలో తక్కువ. మాట్లాడుతూనే కుడుతుంది, కుడుతూనే వింటుంది. నేను ఆ కిటికీ దగ్గర నిలబడి విన్న కబుర్లలో ఇదొకటి. చాలని చోట వాళ్ళాయనను, అల్లుణ్ణి విడివిడిగా అడిగి అతుకు వేసుకున్నాను.

ఆవిడకు చెవులే కళ్ళు. సూది మొద్దుబారితే గుడ్డ మీద పడే చప్పుడు మారుతుందట. కింద బాబిన్‌లో దారం అయిపోవస్తే మిషను గొంతు సన్నబడుతుందట. "వంగి చూడక్కర్లేదు, అదే చెబుతుంది. మనం నోరు మూసుకుని చెవులు తెరుచుకుంటే చాలు" అంటుంది. అందులో మొదటి పని ఆవిడ చేయగా ఎవరూ చూసినట్టు లేదు గానీ, రెండోది మాత్రం నిజం.

వాళ్ళాయన ఉద్యోగమంతా బస్సు నడిపాడు. అందరికీ బస్సు తాత. రిటైరయ్యాక ముచ్చటపడి ఒక పాత చిన్న కారు కొన్నాడు. కొన్నాళ్ళకే చూపు మసకేసింది. స్టీరింగు ముట్టుకోవద్దని కళ్ళ డాక్టరు గట్టిగా చెప్పాడు. బండి పెరట్లో కూర్చుంది. కూతురు ఉండేది ఏటి అవతల. ప్రతి ఆదివారం అల్లుడు ఇటు వచ్చి, ఇద్దర్నీ ఎక్కించుకుని వంతెన దాటించి, సాయంత్రం మళ్ళీ దింపిపోయేవాడు. అతను కారు మెకానిక్కు. వారమంతా కార్ల కింద పడుకునే మనిషికి సెలవు పూట కూడా కారే.

"ఎందుకొచ్చిన తంటా, అమ్మేద్దాం" అన్నాడు బస్సు తాత ఒకరోజు.

"అమ్మడం దేనికి? నేను నేర్చుకుంటాను."

"నువ్వా!"

"ఏం, ఇన్నేళ్ళు మిషను తొక్కిన కాలు. మీ బ్రేకు తొక్కలేదా?"

అలా అరవై దాటాక మిషనమ్మ డ్రైవింగు మొదలుపెట్టింది. నేర్పింది అల్లుడే. పక్క సీట్లో కూర్చుని సాధించింది మాత్రం మొగుడు. "గేరు మార్చు. అది గేరు, గరిటె కాదు. ఆ మలుపేంటి, పెళ్ళికూతురు నడకలా!" ఆవిడ జవాబు చెప్పడానికి అటు తిరిగేది, బండి ఇటు తిరిగేది.

మొదటి టెస్టులో ఇంజను ఆగిపోయింది. రెండో టెస్టులో, వెనక్కి నడుపుతూ డ్రమ్ముల మధ్య బండి పెట్టమంటే ఒక డ్రమ్మును పడగొట్టింది. ఆ రాత్రి అన్నం దగ్గర బస్సు తాత తేల్చేశాడు. "మూడోసారి కూడా తప్పితే అమ్మేద్దాం. డిపోలో నాతో పనిచేసినాయన అడుగుతున్నాడు. మాటిచ్చేశాను."

"సరే" అంది మిషనమ్మ. అంత తేలిగ్గా సరే అన్నదంటే లోపల ఎంత పట్టుదల ఉందో ఆయనకు తెలియాలి. తెలియలేదు.

అక్కడినుంచి ఆవిడ డ్రైవింగు ఒక్కసారిగా మారిపోయింది. మూతపడ్డ గోదాము ముందున్న ఖాళీ జాగాలో అల్లుడు నీలం డ్రమ్ములు పెట్టేవాడు. ఆవిడ వెనక్కి వచ్చి, స్టీరింగు పూర్తిగా తిప్పి, మళ్ళీ సరిచేసి, గీత గీసినట్టు వాటి మధ్య ఆపేది. ఎన్నిసార్లు చేసినా అంతే. "అత్తయ్యా, మీరు నన్ను మించిపోయారు" అన్నాడు అల్లుడు. బస్సు తాత ఏమీ అనలేదు. ఆయన ఏమీ అనలేదంటే అదే పెద్ద బహుమతి.

ఒక్కటే చిక్కు. స్టీరింగు పూర్తిగా తిప్పినప్పుడల్లా ముందు చక్రం దగ్గర టిక్, టిక్ అని చప్పుడు.

"అత్తయ్యా, అది చూడాలి" అని అల్లుడు చాలాసార్లు అన్నాడు. ఆవిడ ప్రతిసారీ ఏదో ఒక వంక పెట్టేది. ఇవాళ వాన, రేపు గిరాకీ, ఎల్లుండి మోకాలు. "ముసలి బండి నాయనా, దానికీ కీళ్ళ నొప్పులు. టెస్టు కానియ్యి."

టెస్టుకు ముందురోజు ఆదివారం. అల్లుడు పెరట్లోకి వచ్చాడు. అత్తయ్యను అడగలేదు, సరాసరి ముందు చక్రం పక్కన కూర్చుని లోపలి వైపు వేలు పెట్టి తీశాడు. వేలు నల్లగా, జిడ్డుగా వచ్చింది.

"ఇదేంటి అత్తయ్యా?"

"ఏముంది, బురద."

"బురద ఇలా జారుతుందా? గ్రీజు. యాక్సిల్ బూటు చిరిగింది."

"కారుకు బూట్లేంటి?" అంది ఆవిడ, తెలియనట్టు.

అల్లుడు ఓపిగ్గా చెప్పాడు. ఇంజను నుంచి చక్రానికి ఒక ఇనుప కడ్డీ వెళుతుంది. దాని చివర జాయింటు. చక్రం ఎటు వంగినా కడ్డీ తిరుగుతూనే ఉండేది ఆ జాయింటు వల్లే. అందులో గ్రీజు నింపి, మడతలు మడతలుగా ఉండే రబ్బరు తొడుగు ఒకటి తొడిగి, రెండు చివర్లా ఇనుప క్లిప్పులతో బిగిస్తారు. అదే బూటు. చిరిగితే గ్రీజు బయటికి, దుమ్ము లోపలికి.

"టెస్టు అయ్యాక చేద్దాంలే."

"ఈ చప్పుడుతో వెళితే ఇన్‌స్పెక్టరు గేటు దగ్గరే వెనక్కి పంపిస్తాడు. పైగా జాయింటే పోయిందనుకోండి, వంతెన మధ్యలో నిలబడిపోతుంది."

ఇక వంక దొరకలేదు. మిషనమ్మ అరుగు మీద కూర్చుని, పనిని కాపలా కాస్తున్నట్టు చూసింది.

అల్లుడు చక్రం నేల మీద ఉండగానే మధ్యలోని పెద్ద నట్టు వదులు చేశాడు. జాకీ ఎక్కించి చక్రం ఊడదీశాడు. అడ్డం వచ్చిన బోల్టులు విప్పి కడ్డీని బయటికి లాగాడు. బూటు మడతల్లో ఒక చోట అడ్డంగా తెగింది, నోరు తెరిచినట్టు.

"ఇంత చిరుగుకా ఇంత హడావిడి? ఇటివ్వు, రెండు కుట్లు వేసిస్తాను."

"కుట్టు కన్నాల్లోంచే కారుతుంది అత్తయ్యా."

"దగ్గర దగ్గరగా వేస్తాను."

"వద్దు అత్తయ్యా."

పాత బూటు కోసేసి, సుత్తితో తట్టి జాయింటు ఊడదీశాడు. డీజిల్‌లో కడిగి, లోపలి ఇనుప గుండ్లను ఒక్కొక్కటే వెలుతురుకు పట్టి చూశాడు. బస్సు తాత పక్కన నిలబడి, కనపడకపోయినా తనూ చూశాడు. జాయింటు పోయి ఉంటే కొత్తది తెప్పించాలి. రేపటికి రాదు. టెస్టు లేదు. ఆ సంగతి ముగ్గురికీ తెలుసు.

"బాగానే ఉన్నాయి!" అన్నాడు అల్లుడు. "గీత కూడా పడలేదు. మరి చప్పుడెక్కడిదో..." కోసి పారేసిన క్లిప్పు తీసి చూసి నవ్వాడు. దాని కొస లేచిపోయి బయటికి వంగి ఉంది. రాసుకుని రాసుకుని వెండిలా మెరుస్తోంది. "దొంగ దొరికాడు. స్టీరింగు పూర్తిగా తిప్పితే బూటు వంగి, ఈ కొస వెళ్ళి లోపలి ఇనుముకు తగులుతోంది. చక్రం ఒక చుట్టు తిరిగితే ఒక టిక్కు. చప్పుడంతా దీనిదే. ఇక వినపడదు చూడండి."

"అసలు వినపడదా?" అంది మిషనమ్మ.

"అసలు వినపడదు."

ఆవిడ లోపలికి వెళ్ళి మంచినీళ్ళు తాగింది.

తిరిగి వచ్చేసరికి అల్లుడు జాయింటు నిండా కొత్త గ్రీజు కూరి, కడ్డీకి తట్టి బిగించి, తృప్తిగా చేతులు తుడుచుకుంటున్నాడు. అనుమానంతో ముందే తెచ్చుకున్న కొత్త బూటు గోనెపట్టా మీద అలాగే ఉంది. దాన్ని ముందే కడ్డీకి ఎక్కించాలి. జాయింటు బిగిశాక ఎక్కదు.

"అల్లుడూ, చెయ్యి దూర్చకుండా చొక్కా తొడుక్కోవడం కొత్త ఫ్యాషనా?"

అతను బూటును చూశాడు, కడ్డీని చూశాడు, నెత్తి కొట్టుకోబోయి చేతికి గ్రీజు ఉందని ఆగాడు. బస్సు తాత కడుపు పట్టుకుని నవ్వాడు. జాయింటు మళ్ళీ ఊడింది. ఈసారి బూటు ముందు ఎక్కింది. మడతలన్నీ సమంగా సర్ది, అంచు కింద వేలు పెట్టి లోపలి గాలి వదిలి, క్లిప్పులు బిగించాడు. కొసలు మడిచి నొక్కాడు. మధ్యాహ్నానికల్లా చక్రం తన చోటికి వచ్చింది.

సాయంత్రం గోదాము జాగా. చివరి సాధన. మిషనమ్మ వెనక్కి వచ్చింది, స్టీరింగు పూర్తిగా తిప్పింది. బండి మెత్తగా, నిశ్శబ్దంగా తిరిగింది, తిరుగుతూనే పోయింది. ఢాం. నీలం డ్రమ్ము దొర్లుకుంటూ గోడ దాకా వెళ్ళింది.

"కంగారు పడకండి అత్తయ్యా."

మళ్ళీ. ఢాం. ఈసారి రెండో వైపు డ్రమ్ము, ఎవరికీ అన్యాయం జరగకుండా.

అల్లుడు గబగబా దిగాడు. తనే ఏదో తప్పు బిగించాననుకున్నాడు. పానా పట్టుకుని చక్రం నట్లన్నీ తిప్పి చూశాడు. తనే నడిపి చూశాడు. బండి వెన్నలా వెళ్ళింది. బస్సు తాత మాత్రం కిటికీ అద్దానికి చెవి ఆనించి కూర్చున్నాడు.

"ఏమోయ్" అన్నాడు నెమ్మదిగా. "ఇన్నాళ్ళూ నువ్వు దేన్ని బట్టి తిప్పావు?"

మిషనమ్మ స్టీరింగు మీద వేలితో నాలుగుసార్లు తట్టింది.

"నాలుగు టిక్కులు" అంది.

"ఏంటీ?"

"పూర్తిగా తిప్పగానే మొదలయ్యేవి కదా. నాలుగోది పడగానే వెనక్కి తిప్పేసేదాన్ని. సరిగ్గా మధ్యలో ఆగేది. కుట్లు లెక్కపెట్టినట్టు లెక్కపెట్టుకున్నాను. మీరెవరూ అడగలేదు, నేను చెప్పలేదు."

అల్లుడి చేతిలోంచి పానా జారింది. "అందుకా రిపేరు వద్దన్నారు!"

"నాయనా, ఆ పాత క్లిప్పు దాచావా? మళ్ళీ పెట్టెయ్యి. ఒక్క రేపటికి."

ముందు అల్లుడు నవ్వాడు, తర్వాత ఆవిడ. బస్సు తాత నవ్వలేదు. మొదటిసారిగా సాధించలేదు కూడా.

"నా చొక్కా కుట్టేటప్పుడు సూదిని చూస్తావా?"

"సూదిని చూస్తే కుట్టు వంకర పోదూ! సూది పక్కన పాదం ఉంటుంది. గుడ్డ అంచు ఆ పాదం పక్కనే నడుస్తోందా లేదా అని చూస్తాను."

"మరి ఈ పక్క అద్దంలో చూడు. మన తలుపు పిడి కనపడుతోందా? అదే నీ పాదం. డ్రమ్ము నీ గుడ్డ అంచు. అది వచ్చి పిడి పక్కన ఆనగానే స్టీరింగు వెనక్కి తిప్పు. నాకు అద్దమే సరిగ్గా కనపడదు గానీ, అందులో ఏం కనపడాలో నాకు తెలుసు."

ఆవిడ ఆయన వైపు తిరిగి చూసింది. "ఈ మాట మొదటి రోజే చెప్పొచ్చు కదా?"

"మొదటి రోజు నీతో పోట్లాడుతున్నాను కదా."

చీకటి పడేదాకా తిప్పింది. డ్రమ్ములు కొన్ని పడ్డాయి, తర్వాత పడడం మానేశాయి.

మర్నాడు టెస్టు మైదానంలో ఇన్‌స్పెక్టరు ఆవిణ్ణి చూడగానే గుర్తుపట్టాడు. "ఏమ్మా, మళ్ళీ వచ్చారా?"

"నన్ను బాగానే గుర్తుపెట్టుకున్నారండీ."

"నేను కాదమ్మా, ఆ డ్రమ్ము."

ఆవిడ బండి ఎక్కింది, ఇన్‌స్పెక్టరు పక్క సీట్లో కూర్చున్నాడు. మామా అల్లుళ్ళు కంచె పక్కన బెంచీ మీద కూర్చున్నారు. అంత దూరం బస్సు తాతకు మసకే. కళ్ళు మూసుకుని చెవులు అటు పెట్టాడు.

బండి ముందుకు వెళ్ళింది. మలుపు తిరిగింది. వెనక్కి మొదలైంది. స్టీరింగు పూర్తిగా తిప్పాక ఆ నిశ్శబ్దంలో తన చెయ్యి ఒక్క క్షణం తడబడిందని ఆవిడే తర్వాత చెప్పింది. చెవి పాత చప్పుడు కోసం వెతుక్కుందట. అప్పుడు అద్దంలోకి చూసింది. నీలం అంచు నెమ్మదిగా జరుగుతూ వచ్చి పిడి పక్కన ఆనింది.

"ఏం వినపడుతోంది?" అడిగాడు బస్సు తాత.

"ఏమీ వినపడట్లేదు మావయ్యా."

"డ్రమ్ము?"

"ఊహూఁ."

ఆయన కళ్ళు తెరిచి, జేబులోంచి రుమాలు తీసి, కళ్ళద్దాలు తుడుచుకుని మళ్ళీ పెట్టుకున్నాడు. "డిపో ఆయనకు చెప్పేస్తాను, బండి అమ్మట్లేదని."

ఇన్‌స్పెక్టరు దిగుతూ, "పాసయ్యారమ్మా. పాత బండైనా చప్పుడే లేదే. బాగా చూసుకుంటున్నారు" అన్నాడట.

"ఎంత మంచి చప్పుడు పోయిందో మీకేం తెలుసండీ" అంది మిషనమ్మ.

తర్వాతి ఆదివారం అల్లుడు ఏరు దాటి రాలేదు. ఇంట్లో హాయిగా పడుకున్నాడు. బండే వెళ్ళింది. మిషనమ్మ స్టీరింగు దగ్గర, బస్సు తాత పక్కన. వీధి చివర మలుపులో ఆవిడ స్టీరింగు పూర్తిగా తిప్పగానే ఆయన ముందుకు చూస్తూ, ఏమీ ఎరగనట్టు నాలుకతో టిక్, టిక్ అన్నాడు.

"వినపడుతోంది" అంది ఆవిడ, అద్దంలోంచి చూపు తిప్పకుండా. "అల్లుడితో చెప్పి మీ నోటిక్కూడా ఒక బూటు తొడిగిస్తాను. రెండు క్లిప్పులూ గట్టిగా బిగించమంటాను."