ఝ తో ఒక పిల్ల

మేనకోడలు పుట్టిన మూడో రోజు తమ్ముడు ఫోన్ చేశాడు.

"అక్కా, ఉత్తరాభాద్ర మూడో పాదం అంట. ఝ తో పేరు పెట్టాలంట!"

అప్పుడు నేను బాపట్లలో మా ఇంటి అరుగు మీద కూర్చుని యూనిట్ టెస్టు పేపర్లు దిద్దుతున్నాను. నేను లెక్కల టీచర్ని. లెక్కలు చెప్పేదాన్నే గానీ ఇంట్లో నన్ను లెక్కచేసేవాళ్లు తక్కువ. అలాంటిది ఇంత పెద్ద పని నాకు అప్పగించేసరికి చేతిలో ఎర్ర పెన్ను ఆగలేదు, ఎవడికో నాలుగు మార్కులు ఎక్కువేశాను. ఝ ని నేను ఆఖరిసారి చూసింది ఒకటో తరగతి వాచకంలో, ఝషం బొమ్మ కింద. ఝషం అంటే చేప. పిల్ల అమ్మమ్మగారిది రేపల్లె, అక్కడ చేపలకి కొదవలేదు, ఇంకోటి ఎందుకు?

అసలు అప్పగించింది తమ్ముడు కాదు, మరదలు. వాడి చేతిలోంచి ఫోన్ లాక్కుంది.

"వదినా, మా క్లాసులో నా పేరుతో అయిదుగురం. పొడుగు, పొట్టి, కళ్లజోడు, డాక్టరుగారమ్మాయి. నన్ను గుర్తుపట్టడానికి అలాంటిదేమీ లేక అయిదో నంబరన్నారు. టీచరు పిలిస్తే నలుగురు లేచేవాళ్లు. నేను లేవడమే మానేశాను. నా కూతురి పేరు పిలిస్తే అదొక్కతే పలకాలి. అర్థం అడిగితే తలెత్తి చెప్పుకోవాలి. ఇరవై ఒకటో రోజు బారసాల. మీ ఇష్టం ఇంక."

ఇష్టమట! ఎంత కష్టమో నాకు తెలుసు. రెండు వారాలు ఫోన్‌లో పేర్ల సైట్లన్నీ తిరగేశాను. చిత్రమేమిటంటే, నోరు తిరగని ప్రతి పేరుకీ 'లక్ష్మీదేవి' అని ఒకటే అర్థం రాసి ఉంది. ఆ లెక్కన అమ్మవారికి ఆధార్ కార్డు ఇవ్వాలంటే ఆఫీసువాళ్లు రాజీనామా చెయ్యాలి. ఒక రోజు పొద్దున టిఫిన్ తింటుంటే తగిలింది: ఝరి. రెండే అక్షరాలు. ఇడ్లీ ముక్క నోటికీ పళ్లేనికీ మధ్య ఆగిపోయింది. కింద అర్థం చూస్తే మళ్లీ లక్ష్మీదేవే. అదృష్ట సంఖ్య ఏడు.

నమ్మకం కుదరక ఆదివారం రైలెక్కి తెనాలి వెళ్లాను. అక్కడ నాకు హైస్కూల్లో తెలుగు చెప్పిన మాస్టారున్నారు.

"నువ్వా అమ్మాయ్! నా క్లాసులో నిద్రపోయేదానివి. ఇప్పటికి మెలకువొచ్చిందా?"

"వచ్చిందండి. ఝరి అంటే లక్ష్మీదేవేనాండి?"

"ఎవరు చెప్పారు?"

"ఇంటర్నెట్టండి."

"ఓసారి పిలుచుకురా. బెంచీ ఎక్కిద్దాం."

మాస్టారు నిఘంటువు ఒళ్లో పెట్టుకుని, వేలితో వరస వెంట దిగారు. ఝరం అన్నా ఝరి అన్నా కొండ మీంచి దూకే సెలయేరు. సంస్కృతంలోంచి మనకొచ్చిన మాట. ఆగకుండా, అందంగా మాట్లాడేవాళ్లది వాగ్ఝరి అంటాం కదా, ఆ ఝరే ఇది. "మాటలోనే నీళ్ల చప్పుడుంది, విను" అని ఆయన గట్టిగా రెండుసార్లు అన్నారు. నిజంగానే నా చేతుల మీద రోమాలు లేచాయి.

"ఒకటే చిక్కమ్మా. మన డెల్టాలో కాలవలు తప్ప ఝరులెక్కడున్నాయి? నీళ్లు దూకాలంటే కొండ ఉండాలి. తెనాలిలో ఎత్తయింది ఫ్లైఓవరే."

"ఇక్కడ ఝరి లేదు గనకే తెచ్చుకుంటున్నామండి" అన్నాను. జీవితంలో మొదటిసారి మాస్టారు నాకు 'బాగుంది' అన్నారు.

ప్లాట్‌ఫాం మీంచే మరదలికి చెప్పాను. పేరూ, అర్థమూ రెండుసార్లు చెప్పించుకుంది. తర్వాత ముక్కు చీదిన చప్పుడు.

బారసాల రోజు పొద్దున రేపల్లెలో వాళ్లింట్లో అడుగుపెట్టేసరికి హాల్లో గడియారం పది కొట్టింది. నా ఫోన్‌లో పావుతక్కువ పది.

"అత్తయ్యగారూ, మీ గడియారం ముందుందండి" అన్నాను మరదలి అమ్మగారితో.

"కావాలని పెట్టిందేనమ్మా. తెనాలి బండి తప్పిపోతుందని మీ మావయ్యగారు ఇరవై ఏళ్లుగా పావుగంట ముందే ఉంచుతారు."

అక్కడితో నోరు మూసుకోవాల్సింది. లెక్కల టీచర్ని, తీసివేత ఆపుకోలేకపోయాను.

"మరి పాప పుట్టిన టైము రాసింది మీరేగా, ఎందులో చూశారండి?"

కాన్పు తెనాలి ఆస్పత్రిలో. ఆ సమయానికి ఆవిడ పాపకి మెత్తటి పాత చీరలు తేవడానికి రేపల్లె వచ్చారు. తమ్ముడు ఏడుస్తూ "ఇప్పుడే పుట్టింది" అని ఫోన్ చేశాడు. ఫోన్ చెవి దగ్గరుంది, ఎదురుగా గోడ మీద గడియారముంది. అందులో చూసి క్యాలెండర్ మీద రాశారు. ఆ కాగితమే జాతకానికి వెళ్లింది.

పంతులుగారు పంచాంగం తెరిచి, పావుగంట వెనక్కి జరిపి, తల గీరుకున్నారు. "రెండో పాదమే అండి. శ రావాలి."

మరదలి క్లాసులో ఆ అయిదుగురి పేరూ శ తోనే.

"నక్షత్రం పేరు శ తో ఒకటి, పిలుపు పేరు ఒకటి, రెండూ రాద్దామండి" అన్నారు పంతులుగారు.

"నాకూ రెండు పెట్టారండి" అంది మరదలు. "బళ్లో మొదటిదే రాశారు. రెండోది ఏమైందో మా అమ్మకే గుర్తులేదు. జాతకంలో మీరు ఏదైనా వేసుకోండి. బియ్యం పళ్లెంలో మాత్రం ఝరి ఒకటే రాయాలి."

హాల్లో చుట్టాలంతా అత్తయ్యగారి వైపు చూశారు. వాళ్ల వైపు ఆడపిల్లలందరికీ శ తోనే పేర్లు. ఆవిడ గడియారం వైపోసారి, కూతురి వైపోసారి చూశారు.

"పొరపాటు నాది. దానికి పిల్ల పేరెందుకు మారాలి? రాయి నాయనా, మా అమ్మాయి చెప్పిందే రాయి."

తమ్ముడు ఉంగరంతో బియ్యంలో రాయబోయి ఆగాడు. వాడికి ఝ రాదు! మరదలు వాడి మణికట్టు పట్టుకుని రాయించింది. పిల్లలు ఇల్లంతా పరుగులు పెడుతున్నారు, ఓ డజను మందైనా ఉంటారు. అత్తయ్యగారు ఉయ్యాల దగ్గర నిలబడి, గుమ్మం దాకా వినపడేలా పిలిచారు.

"ఝరీ!"

మరదలు పాప వైపు చూడలేదు. ఇల్లంతా చూసింది, ఒక్కో పిల్లనీ.

"చూశారా వదినా, ఇంకెవ్వరూ పలకలేదు!"

పాప కూడా పలకలేదనుకోండి. హాయిగా నిద్రపోతోంది.