గున్నమ్మ కేస్ షీటు మీద ఎర్రగీత

రాష్ట్రం రెండుగా విడిపోయిన మరుసటి ఏడు, వేసవి బదిలీల్లో డాక్టర్ హైమావతి మా ఆసుపత్రికి వచ్చింది. అప్పటికి ఎనిమిదేళ్లుగా అక్కడ సర్జరీ విభాగం నేనే చూస్తున్నాను. శ్రీకాకుళం జిల్లాలో ఒడిశా సరిహద్దు వైపున్న ఏరియా ఆసుపత్రి అది. పేరు చెప్పను. నేను రాయబోయే దాంట్లో తప్పు ఆసుపత్రిది కాదు, నాది.

ముందు హోదాల గురించి ఒక మాట చెప్పాలి. మా శాఖలో కొత్తగా చేరిన డాక్టరు ఎవరైనా సివిల్ అసిస్టెంట్ సర్జనే. జ్వరాలకు మందులిచ్చే ఆయనా, కళ్ల డాక్టరూ, జన్మలో కత్తి పట్టని వాళ్లూ ఆ పేరుతోనే సంతకం పెడతారు. ఆ పైన డిప్యూటీ సివిల్ సర్జన్, ఆ పైన సివిల్ సర్జన్. నేను డిప్యూటీని, ఆవిడ అసిస్టెంటు. ఇద్దరమూ నిజంగా కత్తి పట్టే వాళ్లమే. నాకు యాభై రెండేళ్లు, ఆవిడకు ముప్పై ఆరు. యూనిట్ చీఫ్ నేను గనక ఆవిడ రాసిన ఏ కేస్ షీటు మీదైనా చివరి మాట నాది.

నాకు ఆవిడంటే అసూయ. ఉద్యోగంలో ఉండగా ఈ మాట ఎవరితోనూ అనలేదు. సీనియారిటీ అనీ, క్రమశిక్షణ అనీ దానికి వేరే పేర్లు పెట్టుకున్నాను. మా ఓపీ గదులు వరండాకు అటూ ఇటూ ఎదురెదురుగా ఉండేవి. మొదటి నెలలో ఆవిడ గుమ్మం ముందు ముగ్గురో నలుగురో కూర్చునేవారు. దసరా వచ్చేసరికి ఆ వరస మెట్ల మీదికి పాకింది, నా వరస పలచబడింది. కుడివైపు హెర్నియా, ఎడమవైపు హెర్నియా రెండూ నా చేత్తోనే కోయించుకున్న పెద్దాయన ఒకడు, నేను చూడట్లేదనుకుని, నా గది ముందు బల్ల మీంచి లేచి వెళ్లి ఆవిడ గది ముందు కూర్చున్నాడు. ఇంకోరోజు ఉద్దానం నుంచి ఎవరో పనసకాయ తెచ్చి ఆవిడ గుమ్మం పక్కన పెట్టి వెళ్లారు. దాన్ని చూస్తే నాకు ఒళ్లు మండిపోయింది. పనసకాయ నాకు పడదు కూడా.

ఇది చాలదన్నట్టు ఆవిడ కేస్ షీట్లొకటి. నావి అయిదు వరసల్లో ముగిసేవి. ఆవిడ పేజీ నిండా రాసేది. రోగి చెప్పిన మాట, తను చూసింది, ముట్టుకుంటే తెలిసింది, అన్నీ విడివిడిగా ఉండేవి. నెలవారీ సమీక్షలో సూపరింటెండెంటు గారు ఆవిడ షీటు ఒకటి పైకెత్తి చూపించి, కేస్ షీటంటే ఇలా ఉండాలన్నారు. ఆయన నా వైపు చూశారో లేదో నాకు తెలీదు. చూశారనే అనుకుని ఆ రోజు మధ్యాహ్నం భోజనం సగంలో లేచిపోయాను.

సర్జన్లకు గడ్డను వర్ణించే మాటలు కొన్ని ఉంటాయి. విద్యార్థులకు వాటిని వాళ్ల మొహం మీదే నేర్పుతాం. పెదవిని నొక్కితే ఎలా ఉంటుందో అది మెత్తన. ముక్కు కొసలా ఉంటే గట్టి. నుదుటిలా ఉంటే రాయి. లోపల చీము చేరితే ఇంకో మాట, ఫ్లక్చువెంట్. గడ్డకు అటొక వేలు, ఇటొక వేలు ఆనించి ఒక వేలితో నొక్కితే లోపలి చీము కదిలి రెండో వేలిని పైకి లేపుతుంది. మామూలు భాషలో చెప్పాలంటే గడ్డ పండింది, కోయవచ్చు. నేను చదువుకున్న రోజుల్లో మా ప్రొఫెసరు పండని గడ్డ మీద కత్తి పెట్టనిచ్చేవారు కాదు. ఊళ్లలో జనం లెక్క కూడా అదే. ఆకు వేడిచేసి కట్టి, పండేదాకా ఆగి, అప్పుడు వస్తారు.

ఈ వరసలో ఇమడని పాత మాట ఒకటుంది, బ్రానీ. ఆ మాట అడవిపంది మాంసం నుంచి వచ్చిందని ఎక్కడో చదివాను. దట్టంగా, మందంగా, బిగుతుగా ఉండే మాంసమన్నమాట. సర్జరీలో దాని వాడుక చాలా తక్కువ. చర్మం, కొవ్వు, కండ అన్నీ కలిసి ఒకే దిమ్మలా బిగుసుకుపోయిన వాపుకే ఆ మాట వాడతారు. దానికి అంచు ఉండదు, ఎక్కడ మొదలైందో ఎక్కడ ఆగిందో చెప్పలేం. వేలితో నొక్కితే గుంట పడదు. రెండు వేళ్ల పరీక్షకు అందదు. మొత్తం అరచేయి వేసి చూస్తేనే తెలుస్తుంది. దవడ కింద ఇలాంటి వాపు వస్తే అది పండే రకం కాదు. విషం కండల సందుల్లో పరుచుకుని, నాలుకను పైకి నెట్టి, ఊపిరి దారి మూసేస్తుంది. కాబట్టి ఆ మాట రాసిన డాక్టరు, ఆగకండి అని రాసినట్టే లెక్క. పరీక్షలు రాసిన తర్వాత ఆ మాటను నేను ఒక్కసారి కూడా వాడలేదు.

కార్తీకంలో ఒక సోమవారం ఉదయం గున్నమ్మ వచ్చింది. సముద్రం పక్క ఊరి నుంచి ఎండుచేపలు తెచ్చి పాతపట్నం వైపు సంతల్లో అమ్ముకునే మనిషి. యాభై దాటి ఉంటాయి. అక్కడి ఆడవాళ్లలో చాలామందిలాగే అడ్డచుట్ట కాల్చేది, అంటే నిప్పున్న కొస నోట్లో పెట్టుకుని. కింది దవడ పన్ను పుచ్చి నాలుగు రోజులుగా సలుపుతుంటే వాపు గడ్డం కింద రెండు పక్కలకూ పాకింది. వెంట చెల్లెలు పైడమ్మ ఉంది. హైమావతి చూసి వార్డులో చేర్చింది. పదకొండున్నరకు నేను రౌండ్స్‌కి వెళ్లి, మంచం కాళ్ల దగ్గర నిలబడి, షీటు తీసి చదివాను. దవడ కింద రెండు వైపులా బ్రానీ వాపు, ఈ పూటే కోసి బిగువు వదిలించాలి, గొంతుకు రంధ్రం చేసే సామాను సిద్ధంగా ఉంచాలి అని రాసి ఉంది.

నాకు తెలిసీ నేను వాడని మాట, ఆవిడ ఎంత తేలిగ్గా రాసిందో అనిపించింది. పక్కనే హైమావతి ఉండగా, నర్సుల ముందే నవ్వి, ఇలాంటి మాటలు పరీక్షల్లో రాసుకోవాలి, వార్డులో కాదు అన్నాను. జేబులోంచి ఎర్రపెన్ను తీసి ఆ మాట మీద అడ్డంగా గీత కొట్టాను. పక్కన 'గట్టి, ఇంకా పండలేదు' అని రాశాను. ఇంజక్షన్లు, వాపు మీద మెగ్‌సల్ఫ్ గ్లిజరిన్ మందు పట్టు, రెండు రోజుల తర్వాత చూద్దాం అని కింద సంతకం పెట్టాను. గీత కొట్టేటప్పటికి నేను గున్నమ్మను ముట్టుకోలేదు. సంతకం అయ్యాక, నలుగురూ చూస్తున్నారని, దవడ కింద రెండు వేళ్లు ఆనించి తీశాను.

గున్నమ్మ నోట్లో తాంబూలం కుక్కుకున్నట్టుగా మాట్లాడుతోంది. "సెక్కనాగ బిగిసిపోనాది బాబూ," అంది.

"ఉమ్మెత్తాకు కట్టినాం బాబూ, పండనేదు," అంది పైడమ్మ.

పండుతుందిలే, కంగారు పడకండి అన్నాను. పైడమ్మ ఉమ్మెత్తాకుకూ నా పట్టుకూ ఉద్దేశం ఒక్కటేనన్న సంగతి అప్పుడు తట్టలేదు.

హైమావతి ఒక్కసారి మాత్రం, గున్నమ్మ వెల్లకిలా పడుకోలేకపోతోంది సార్, అంది. ఇంజక్షన్లు పడితే పడుకుంటుందిలే అన్నాను. తర్వాత హైమావతే గున్నమ్మ మంచాన్ని నర్సుల బల్ల ఎదురుగా జరిపించి, వీపు వెనక దిండ్లు పెట్టించి కూర్చోబెట్టింది. సామాను ట్రే మీద గుడ్డ కప్పి పక్కనే ఉంచింది. నా ఆర్డరులో అది లేదు, అలాగని వద్దనీ లేదు. తిరిగి వస్తూ చూసి, కావాలనే నన్ను తక్కువ చేస్తోందని అనుకున్నాను.

మధ్యాహ్నం మూడు దాటాక హెడ్ నర్సు సావిత్రి నా గదికి పరుగున వచ్చింది. వెళ్లేసరికి గున్నమ్మ ముందుకు వంగి, రెండు చేతులూ మంచం మీద ఆనించి కూర్చుని ఉంది. ఉమ్ము మింగలేక గడ్డం మీదుగా కారుతోంది. నాలుక పైకి లేచి పళ్ల మధ్యకు వచ్చింది. ఊపిరి పీలుస్తుంటే చప్పుడు వరండాలోకి వినబడుతోంది. అప్పుడు అరచేయి మొత్తం ఆవిడ గడ్డం కింద వేశాను. దానికి అంచు లేదు. చెవి కింద నుంచి చెవి కింద దాకా ఒకటే చెక్క. నేను కొట్టేసిన మాట నా చేతికింద ఉంది.

విశాఖ పంపే ప్రశ్నే లేదు. మూడు గంటల దారి, పడుకోబెడితే దారిలోనే పోతుంది. మత్తు డాక్టరు ఆ రోజు సెలవు. అలాంటి వాపున్న మెడలో గొంతుకు రంధ్రం చేయడం నేనెప్పుడూ చేయలేదు. మామూలు మెడల్లో చేసి కూడా ఏళ్లయింది. హైమావతి పీజీలో ఆ పని చాలాసార్లు చేసిందని నాకు తెలుసు. ఆవిడ బయోడేటా వచ్చిన రోజే మొత్తం చదివాను.

"మేడమ్ గారు కట్ల గదిలో ఉన్నారు. పిలవమంటారా సార్?" అని సావిత్రి అడిగింది.

అక్కర్లేదు, నేను చూస్తాను అన్నాను. గ్లోవ్స్ వేసుకున్నాను. ఊపిరి గొట్టం ఎక్కడుందో మెడ మీద వేళ్లతో వెతికాను. దొరకలేదు. మళ్లీ వెతికాను. ఎంతసేపు వెతికానో గడియారం చూడలేదు గానీ, గున్నమ్మ పెదాలు నల్లబడటం చూశాను. పైడమ్మ వచ్చి నా మణికట్టు పట్టుకుంది.

"నీ కాళ్లట్టుకుంటాను బాబూ, ఆ డాట్రమ్మని పిలు. మాయప్ప సచ్చిపోతన్నాది."

ఒక మనిషి నా కళ్ల ముందు చచ్చిపోతోంది. ఆ క్షణంలో కూడా నాకు ముందు గుచ్చుకున్నది 'ఆ డాట్రమ్మ' అన్న మాటే. ఇది రాయడానికి సిగ్గుగా ఉంది, కానీ జరిగింది అదే. ఆ తర్వాతే సావిత్రి వైపు చూసి తలూపాను. అప్పటికే హైమావతి గుమ్మంలో ఉంది. సావిత్రి నన్ను అడగక ముందే కబురు పంపిందని తర్వాత తెలిసింది.

ఆవిడ షీటు వైపు చూడలేదు, నా మొహం వైపూ చూడలేదు. మీరు చేస్తారా సార్, నన్ను చేయమంటారా అని పద్ధతి ప్రకారం అడిగింది. మీరే చేయండమ్మా అన్నాను. గున్నమ్మను కూర్చోబెట్టే ఉంచి, మెడ మీద మత్తు సూది వేసి, మధ్యలో నిలువుగా కోసింది. ఆ తర్వాత కళ్లతో కాదు, లోపల వేలు పెట్టి వేలితోనే గొట్టాన్ని వెతికింది. కోసిన అంచులను పక్కలకు లాగి పట్టే పనిముట్టును రిట్రాక్టర్ అంటాం. హౌస్ సర్జన్లు పట్టుకునే వస్తువు అది. ఇరవై ఏళ్ల తర్వాత మళ్లీ అది పట్టుకున్నాను. ట్యూబు లోపలికి వెళ్లగానే గున్నమ్మ దగ్గింది, నా చొక్కా మీద నెత్తురు చిందింది. నిమిషంలో పెదాల రంగు మారింది. తర్వాత దవడ కింద రెండు చోట్ల లోతుగా కోసి బిగువు వదిలించింది. చెంచాడు చీము కూడా రాలేదు. పలచటి మురికినీరు, కంపు. నేను పండుతుందని ఆగిన గడ్డ అది.

థియేటర్ రిజిస్టర్‌లో సర్జన్ పేరు రాసే గడి ఒకటి, సహాయకుడి పేరు రాసే గడి ఒకటి ఉంటాయి. మా దగ్గర ఎవరు కోసినా మొదటి గడిలో యూనిట్ చీఫ్ పేరే రాయడం ఆనవాయితీ. సావిత్రి అలాగే రాసి సంతకానికి తెచ్చింది. పెన్ను నా చేతిలోనే ఉంది. పొద్దున ఒక మాట కొట్టేసినంత తేలిగ్గా ఆ పేరూ కొట్టేయవచ్చు. సంతకం పెట్టి ఇచ్చేశాను. ఆ నెల సమీక్షలో సూపరింటెండెంటు గారు ఆ కేసు గురించి నన్ను మెచ్చుకున్నారు. హైమావతి బల్లకు అటు పక్కన కూర్చుని ఉంది. థాంక్యూ సార్ అన్నాను.

రెండు రోజులు ఆగి, ఏదో చెప్పాలని ఆవిడ గదికి వెళ్లాను. ఆవిడే ముందు మాట్లాడింది. ఆ రోజు పొద్దున్నే గట్టిగా వాదించాల్సింది సార్, సీనియర్ కదా అని ఊరుకున్నాను, తప్పు నాది కూడా, అంది. నేను ఒప్పుకుందామని వెళ్లిన తప్పును కూడా ఆవిడే ముందు ఒప్పుకుంది. దానికీ కుళ్లుకున్నాను. ఏమీ చెప్పకుండా తిరిగొచ్చాను.

ట్యూబు తీసి, మెడ మానాక, పుచ్చిన పన్ను పీకించుకుని గున్నమ్మ డిశ్చార్జి అయింది. డిశ్చార్జి చీటీ మీద సర్జన్‌గా ఉన్న నా పేరు సావిత్రి చదివి చెప్పినట్టుంది. నా గదికి వచ్చి, బొంగురు గొంతుతో, "నన్ను బతికించినావు బాబూ, నీ సెయ్యి సల్లంగుండ," అని దండం పెట్టింది. పైడమ్మ పక్కనే నిలబడి ఉంది. ఎవరు బతికించారో ఆవిడ కళ్లారా చూసింది. నా మొహంలోకి చూసింది. చుట్ట మానేయమని గున్నమ్మకు సలహా చెప్పి పంపేశాను.

ఆ తర్వాత తొమ్మిదేళ్లు పనిచేసి రిటైరయ్యాను. హైమావతి మరుసటి ఏడే గజపతినగరం వైపు బదిలీ మీద వెళ్లింది. ఆవిడ మీద అసూయ మాత్రం వెళ్లలేదు. వెళ్తుందని ఎవరైనా చెబితే నేను నమ్మను. నేను చేయగలిగింది పని పద్ధతి ఒకటి మార్చుకోవడం. గున్నమ్మ ఆపరేషన్ మర్నాటి నుంచి, జూనియర్ రాసిన షీటు చదివే ముందు రోగి మీద చేయి వేసి చూసేవాణ్ణి. గుణం మారి కాదు, మారదని తెలిసి.

ఆ రిజిస్టర్ ఇప్పటికీ రికార్డు గదిలో ఉండి ఉంటుంది. గున్నమ్మ వరసలో సర్జన్ గడిలో నా పేరుంది. ఆ ఆపరేషన్ చేసింది డాక్టర్ హైమావతి. నేను రిట్రాక్టర్ పట్టుకున్నాను.