కిటికీలో చిన్నాయన సీసా

మా చిన్నాయన ఇక లేడు. గురువారం పొద్దున వనపర్తి దవాఖాన నుంచి చిన్నమ్మ ఫోన్ చేసింది. నేనప్పుడు పెద్దమందడి దగ్గర ఒక చేనులో బోరు మోటరు పైకి లాగిస్తున్నాను. "బిడ్డా, మీ చిన్నాయన పోయిండు" అన్నది. ఏడ్వలేదు. "ఆదివారానికి ఇంక మూడు దినాలే ఉండె గద" అన్నది.

ఆ రెండో మాట ఇప్పటికీ నా గుండెలో గుచ్చుకునే ఉంది. అదెందుకో మీకూ తెలియాలి. ఆయన పేరు మీద నేను వేసిన మచ్చ చుట్టుపక్కల సంఘాల్లోని మీలో కొందరి నోళ్లలో ఇంకా ఉంది కనుక తెలియాలి.

నేను బోర్ల మెకానిక్‌ను. బైబిలు పాఠశాల గడప తొక్కినవాణ్ణి కాదు. పరిశుద్ధ గ్రంథం నా పానాల సంచిలోనే ఉంటుంది. గ్రీజు మరకలు పడని పేజీ అందులో తక్కువ. అక్షరం అక్షరం కూడబలుక్కొని చదివి నేర్చుకున్నాను, కొల్లాపూర్‌లో మా చిన్న సంఘానికి ఆదివారం వాక్యం చెబుతున్నాను. నా గొంతుకు మైకు అక్కరలేదని అందరూ అంటారు. అయినా మైకు పట్టుకుంటాను. ఆ సంగతి కూడా ఈ కథలో ఉంది.

పాలమూరు మనిషి బొంబాయికి కూలికి పోవడం కొత్త కాదు. చిన్నాయన బొంబాయి దగ్గర ఆగలేదు. అక్కడ క్యాంటీన్‌లో గిన్నెలు తోమి, కూరగాయలు తరిగి, చివరికి ఓడల మీద వంటవాడయ్యాడు. పసిఫిక్ సముద్రంలో పాలినేషియా దీవులని ఉన్నాయట. అక్కడ ఒడ్డున ఇసుకలో నిప్పులు పరిచి, అనాస రసంలో నానబెట్టిన కోడినీ చేపనూ కాలుస్తారట. ఒక దీవి వంటమనిషి దగ్గర ఆ పని నేర్చుకున్నాడు. ఆయన భాష ఈయనకు రాదు, ఈయన తెలుగు ఆయనకు రాదు. "నాలుకకు నాలుకే చెప్పింది రా" అనేవాడు చిన్నాయన.

ఊరికి తిరిగొచ్చాక ఇనుప డ్రమ్మును నిలువునా కోయించి, దాని మీద జాలీ పరిచి, తుమ్మబొగ్గులు రాజేసి, మొదటి కోత పండుగకు మా అందరికీ కాల్చిపెట్టాడు. మా సంఘంలో ఒక ముసలవ్వ ఉంది. నోరు గట్టిది. ఆమె మొదట వాసన చూసింది.

"ఏంది నాయనా, కోడికి బెల్లం పూసినవా? ఇది కోడా, అరిసెనా?"

"తిని తిట్టు అవ్వా."

తిన్నది. ఎముక వదిలిపెట్టలేదు. తర్వాత విస్తరి ముందుకు జరిపి, "ఇంకో రెండు అరిసెలెయ్యి" అన్నది. ఆ రోజు నుంచి మా సంఘంలో ఆ కోడి పేరు అరిసెల కోడి.

ఆయన పని చూడముచ్చటగా ఉండేది. అల్లం, ఎల్లిగడ్డ రోట్లోనే నూరాలి. బెల్లం నల్లగా ఉండాలి. సోయా సాస్, నిమ్మరసం, కచ్చాపచ్చాగా దంచిన ఎండుమిరపకాయలు, కాస్త నువ్వుల నూనె, నల్లమల నుంచి వచ్చిన తేనె రెండు చెంచాలు. వీటన్నిటినీ కలిపేది అనాస రసం. గరిటెతో ఎప్పుడూ రుచి చూసేవాడు కాదు. ఎడమచెయ్యి వెనక్కి తిప్పి, దాని మీద ఒక్క చుక్క వేసుకొని, నాలుకకు తగిలించి, తల పక్కకు వంచి కళ్లు మూసుకునేవాడు. "తీపి పిలుస్తది, ఉప్పు కూసోబెడ్తది" అనేవాడు. అనాస దొరకని రోజుల్లో మామిడి రసం పోసేవాడు. "కొల్లాపూర్ల పుట్టి మామిడికాయను మరుస్తనా?" అని నవ్వేవాడు.

ఓడల మీద ఉన్నప్పుడు ఆయన తాగేవాడు. దాచను, ఆయనా దాచలేదు. ఊరికి వచ్చాక, ఒక ఉపవాస ప్రార్థనలో, నా ముందే మోకాళ్లూని మానేశాడు. మళ్లీ ముట్టలేదు. ఆ తర్వాత కొన్నేళ్లకు ప్రభువు బల్ల నాడు ద్రాక్షరసం గిన్నె పట్టుకొని వరసల మధ్య నడిచే పని పెద్దలు ఆయనకిచ్చారు. తెల్లచొక్కా, భుజం మీద తువ్వాలు, రెండు చేతుల్లో గిన్నె. ఆయన నడిస్తే చుక్క తొణికేది కాదు. ఓడ ఊగుతుంటేనే సాంబారు మోసినవాడు మరి! ఆ పని ఆయనకు ఎంత విలువైనదో చిన్నమ్మకు తెలుసు. శనివారమే ఆ చొక్కా ఇస్త్రీ చేసిపెట్టేది.

ఇక నా పాపం చెబుతాను.

మొన్నటి వానకాలంలో ఒక సాయంత్రం వాళ్ల వాకిలి ముందు నుంచి పోతున్నాను. బజారు వైపు కిటికీలో బ్రాందీ సీసా. లేబుల్ కూడా చింపలేదు. లోపల నల్లగా, చిక్కగా, సగానికి పైగా ఉంది. నా నెత్తురు ఉడికింది. తలుపు తట్టానా? లేదు. అడిగానా? లేదు. ఇంటికి పోయి గ్రంథం తెరిచి, మద్యం మీద వచనాలన్నీ ఏరుకొని కూర్చున్నాను. మా ఇంట్లో తేనె కూడా అలాంటి సీసాలోనే ఉంది. నల్లమల నుంచి దిగివచ్చే చెంచు అక్క మా అందరికీ అలాంటి సీసాల్లోనే తేనె పోసిస్తుంది. కొల్లాపూర్‌లో సులువుగా దొరికే సీసా అదే. అది నాకు గుర్తు రాలేదు. గుర్తు రానివ్వలేదు అంటే నిజం.

ఆదివారం మైకు పట్టుకొని గర్జించాను. "ఈ సంఘంలోనే, ఒక ఇంటి కిటికీలో సైతాను కూర్చొని ఉన్నాడు! గిన్నె మోసే చేతులే సీసా మోస్తున్నాయి!" పేరు చెప్పలేదు. చెప్పవలసిన అవసరం ఎక్కడుంది? గిన్నె మోసేది ఒక్కడే. తలలన్నీ తిరిగాయి. చిన్నాయన తల దించుకోలేదు, ఎత్తలేదు. భుజం మీది తువ్వాలు తీసి, మడిచి, ఒళ్లో పెట్టుకున్నాడు.

తర్వాతి ప్రభువు బల్లకు పెద్దలు గిన్నెను ఇంకొకరి చేతికిచ్చారు. చిన్నాయన చివరి వరసలో కూర్చొని, ఆ చేతి నుంచి తీసుకొని, తల వంచి తాగాడు. రావడం మానలేదు. నాతో మాట్లాడడమూ మానలేదు.

మూడు వారాల తర్వాత ఆయనను మారుమనసుకు పిలుద్దామని నేనే ఇంటికి పోయాను. పిలవడానికి పోయినవాణ్ణి నేను! ఆయన వాకిట్లో బొగ్గులు ఊదుతున్నాడు.

"రా బ్రదరూ, కూసో. తిని పోదువు."

"తినడానికి రాలేదు చిన్నాయనా. ఆ సీసా సంగతి తేల్చడానికి వచ్చిన."

"తేల్చుదాం తియ్యి" అని లోపలికి పోయి అదే సీసా తెచ్చాడు. నా ముందే మూత తిప్పాడు. నేను లేచి నిలబడ్డాను. ఆయన దాన్ని గిన్నెలోని కోడి కాళ్ల మీద పోశాడు. అల్లం వాసన, బెల్లం వాసన, వాటి కింద పండిన అనాస వాసన. ఎడమచేతి వెనక ఒక చుక్క వేసి నా నోటి ముందు పెట్టాడు.

నాకాను. మందు రుచి ఎక్కడా లేదు.

"నూడుల్స్ బండాయన పెద్ద డబ్బాల నుంచి సోయా పోసిస్తడు. సీసా మనమే తీస్కపోవాలె. బండి పక్కన గదే దొరికింది. కడిగి, ఉడకబెట్టి, అన్నీ కలిపి అండ్లనే పోసి పెట్టుకున్న" అన్నాడు.

"మరి నాకెందుకు చెప్పలేదు?"

"నువ్వు అడగలే గద బిడ్డా."

ప్రియులారా, తిరిగి లేచిన ప్రభువు ఒడ్డున నిప్పులు రాజేసి చేపలు కాల్చాడు. ఎవరికోసం? తనను ఎరుగనని ఒట్టు పెట్టుకున్న శిష్యుడు కూడా ఒడ్డుకు వస్తున్న పడవలో ఉన్నాడు. వాడికీ పెట్టాడు. ఎన్నిసార్లు ప్రసంగించానో ఆ వచనం మీద! అర్థమైంది మాత్రం ఆ రోజు, ఆ వాకిట్లో, వేళ్లకు అంటిన తీపిని నాకుతూ. కాళ్ల మీద పడ్డాను. "లే, బొగ్గులు చల్లారుతున్నయి" అన్నాడు.

చిన్నమ్మ మాత్రం గడపలో నిలబడి చూసింది. "మైకుల తిట్టినవ్, వంటింటి ముంగట మొక్కుతున్నవ్. గిదేం లెక్క బిడ్డా?" అన్నది.

ఆమె మాటే న్యాయం. వచ్చే ఆదివారం అందరి ముందూ చెబుతానన్నాను. ఆ ఆదివారం బయటి ఊరి బోధకుడు వచ్చాడు. తర్వాతి వారం పెళ్లి. ఆ తర్వాత నాలుగు నెలలు ఏ అడ్డమూ లేదు, నా సిగ్గు తప్ప. ఇతరుల పాపాల మీద భగ్గుమనే నోరు నా తప్పు దగ్గరికి వచ్చేసరికి తడి కట్టె అయింది. పొగ తప్ప మంట రాలేదు. ఆయన ఒక్కసారీ గుర్తు చేయలేదు. చిన్నమ్మ శనివారం చొక్కా ఇస్త్రీ చేయడం మానలేదు.

ఆయన పోవడానికి ముందు ఆదివారం కోత పండుగ. చిన్నాయనకు ఆయాసం ఎక్కువగా ఉంది. కుర్చీలో కూర్చుంటానన్నాడు, కాల్చే పని నన్ను చేయమన్నాడు. నాకంతా తెలుసనుకున్నాను. రసం బాగా పట్టాలని ముందురోజు మధ్యాహ్నమే పచ్చి అనాస రసం పిండి కోడిని నానేశాను. మరునాడు జాలీ మీద పెడితే ముక్క నిలబడలేదు. ఎముకలు జాలీ మీద మిగిలాయి, మాంసం పిండిలా జారి బొగ్గుల్లో పడింది.

ముసలవ్వ వంగి చూసింది. "బ్రదర్ ఉప్మా చేసిండు రో!" అని అరిచింది.

చిన్నాయన నవ్వు ఆపుకోలేక దగ్గాడు, దగ్గు ఆపుకోలేక నవ్వాడు. నన్ను దగ్గరికి పిలిచాడు. "అనాస పచ్చిది పోస్తె గంట కన్న ఎక్కువ ఉంచొద్దు రా. కండను తినేస్తది. ఎక్కువసేపు పెట్టాల్నంటె ముందు కాచాలె. కాచినంక రుచి ఉంటది, కోపం ఉండది." కాసేపు ఊపిరి తీసుకొని, "నీ వాక్యం గూడ గంతే బిడ్డా. మంచిదే. జర కాచి పొయ్యి" అన్నాడు.

నా కళ్లలో నీళ్లు వచ్చాయి. "వచ్చే ఆదివారం తప్పక చెబుత చిన్నాయనా. అందరి ముంగట."

"చెప్పు. గట్టిగ వద్దు. నా చెవులు మంచిగనే ఉన్నయి."

చిన్నమ్మ ఫోన్‌లో అన్న ఆదివారం అదే. గురువారమే ఆయన వెళ్లిపోయాడు. శుక్రవారం మట్టి ఇచ్చాం.

ఆదివారం పొద్దున చిన్నమ్మ దగ్గరికి పోయి ఆ సీసా అడిగాను. ఎందుకని అడగలేదు. తువ్వాలుతో తుడిచి ఇచ్చింది. మందిరంలో దాన్ని గ్రంథం పక్కన పెట్టాను. మైకు పక్కకు జరిపాను. నేను చూసిన సీసా ఇదేననీ, అందులో ఉన్నది అనాస రసమూ బెల్లమూ సోయా అనీ, నాలుగు నెలల కిందటే అది నాకు తెలుసనీ, తెలిసీ నోరు మూసుకున్నాననీ చెప్పాను. ఆ మనిషి ఆనాడు మోకాళ్లూని మానేసిన తర్వాత ఒక్క చుక్క ముట్టలేదని చెప్పాను. గట్టిగా చెప్పలేదు. చివరి వరస దాకా వినిపించింది.

ముసలవ్వ లేచింది. "మరి ఇన్ని నెలలు ఏం చేసినవ్ బ్రదర్?"

  గిన్నెను వేరే చేతికిచ్చిన పెద్దల్లో ఒకాయన మొహానికి తువ్వాలు కప్పుకున్నాడు.

మధ్యాహ్నం ఆయన డ్రమ్ములోనే బొగ్గులు రాజేశాం. కృష్ణానది నుంచి వచ్చిన చేపలు, కోడి కాళ్లు. రసం కాచి, చల్లార్చి, ఆ సీసాలో పోశాను. ఎడమచేతి వెనక ఒక చుక్క వేసుకోబోయి ఆగి, చిన్నమ్మ చేతి మీద వేశాను. ఆమె నాలుకకు తగిలించుకొని, తల పక్కకు వంచి, కళ్లు మూసుకుంది. 

"ఉప్పు జర తక్కువైంది" అన్నది.

ఉప్పు వేశాను. అందరూ తిన్నారు. ఒక్క ముక్కా జారిపోలేదు.

సాయంత్రం సీసా ఖాళీ అయింది. నేను కడుగుతానంటే చిన్నమ్మ ఇవ్వలేదు. తనే కడిగి, ఆరబెట్టి, బజారు వైపు కిటికీలో మునుపటి చోటే పెట్టింది. లేబుల్ చింపేయనా అని అడిగాను. తల అడ్డంగా ఊపి, లేబుల్ బజారుకు కనిపించేలా సీసాను తిప్పింది. పక్కనే మేకుకు ఇస్త్రీ చేసిన తెల్లచొక్కా వేలాడుతోంది. పొద్దువాటారే ఎండ ఖాళీ సీసాలోంచి పోయి, ఆ చొక్కా మీద బెల్లం రంగులో పడింది.