తువ్వాల కప్పని బగోన

నా చిన్నప్పుడు నిజాం రజాకార్లు మా ఊరి మీద పడి మా మగ్గం తగలబెట్టారు. సగం నేసిన చీరతో సహా అంతా బూడిదైంది. ఆ సంగతి ఎవరడిగినా చెబుతాను. కానీ ఆ తర్వాత మా ఇంట్లో జరిగింది మాత్రం డెబ్బై ఏళ్లు దాటినా బయట అనలేదు. పోయిన ఎండాకాలం మా మనవరాలు కెమెరా పట్టుకుని పోచంపల్లికి రాకపోతే అది నాతోనే పోయేది.

ఆ పిల్ల డాక్యుమెంటరీలు తీస్తుంది. రజాకార్ల కాలం గురించి, ఆ వెనుక నిజాంను దించడానికి భారత సైన్యం వచ్చిన రోజుల గురించి మా ఊరి ముసలివాళ్లతో చెప్పించింది. అందరూ తమకు జరిగింది చెప్పారు. తాము చేసింది ఒక్కరూ చెప్పలేదు.

"అందరు మంచోళ్లే అయితే తురకోళ్ల ఇండ్లు ఎవలు దోచిన్రు అవ్వా? గది లేకుంటే నా సినిమా అబద్ధమే గదా" అని తల పట్టుకుంది. మా తమ్ముడు నన్ను చాటుకు పిలిచి, "అక్కా, గా ముచ్చట తీయకు. నాయిన ఇజ్జత్ పోతది" అన్నాడు. రెండు రోజులు నాకు ముద్ద దిగలేదు.

మా పక్కింటి తురకాయన దర్జీ, మేం చాచా అనేవాళ్లం. మా మగ్గం మండుతుంటే బావి నుంచి నీళ్లు తోడి పోసింది ఆయనే. సైన్యం వచ్చాక ఆయనా, ఆయన భార్య చాచీ, రజాకార్ల మీది కోపం జనం తమ మీద తీర్చుకుంటారని భయపడి ఇల్లు వదిలి పారిపోయారు. జనం వాళ్ల తలుపు పగలగొట్టారు. ఆ జనంలో మా నాయిన కూడా ఉన్నాడు. పండుగలకు వండుకునే పెద్ద రాగి బగోన మోసుకొచ్చి, "మన మగ్గం పోయింది గదా" అన్నాడు. నాయిన తల్లి, అంటే మా అవ్వ, ఆ పూట అన్నం ముట్టలేదు. ఆ బగోనను పొయ్యి ఎక్కనివ్వలేదు.

నెల తర్వాత వాళ్లు తిరిగొచ్చారు. మా దగ్గర ఎవరి గిన్నెనూ ఖాళీగా తిరిగివ్వరు. అందుకని అవ్వ ఆ బగోనలో అడుగున నాలుగు సోలల జొన్నలు పోసి నెత్తికెత్తుకుంది. దొడ్డిగోడ మీంచి అందిస్తే సరిపోయేది. ఆమె ముందు వాకిట్లోంచి పట్టపగలు వీధిలోకి దిగింది! నాకు సిగ్గుతో చచ్చినంత పనైంది. పరుగెత్తుకెళ్లి తువ్వాల తెచ్చి దాని మీద కప్పబోయాను. అవ్వ దాన్ని లాగి అవతల పారేసింది.

"తెచ్చినప్పుడు లేని సిగ్గు ఇచ్చేటప్పుడు ఎందుకే?"

అరుగుల మీద మనుషులు నోళ్లు తెరిచి చూస్తుండగా, "నా కొడుకు ఎత్కొచ్చిండు బిడ్డా, తప్పయింది" అని చాచీ ముందు దించింది. చాచీ ఆమె చేతులు పట్టుకుని ఏడ్చేసింది. పొద్దుగూకే లోపల ఇంకో రెండిళ్ల నుంచి సామాన్లు తిరిగొచ్చాయి.

మూడో రోజు పొద్దున్నే ఇదంతా కెమెరా ముందు చెప్పాను. "ముఖం కనవడకుండ పెట్టాల్నా అవ్వా?" అని మనవరాలు మెల్లగా అడిగింది.

"ఏం కప్పకు బిడ్డా. నేను ఆమె మనుమరాలిని."

గడపలో నిలబడి అంతా విన్న తమ్ముడు ఏం గొడవ చేస్తాడోనని అటు చూశాను. వాడు కండువాతో కళ్లు తుడుచుకుని వచ్చి నా పక్కన కూర్చున్నాడు.

"జొన్నలు నేను గూడ పోసిన. గది గూడ సినిమాల పెట్టు బిడ్డా" అన్నాడు.

ఆ బగోన తిరిగిచ్చాక రాగి సామాను మా ఇంట్లోకి ఎన్నడూ రాలేదు. కానీ మా ఇంటి తప్పు ఏదైనా ఒప్పుకోవాల్సి వస్తే, ఈ వయసులోనూ నేను ముందు వాకిట్లోంచే వెళ్తాను.