మా వసారాలో చైనా యుద్ధం

మా నాన్నకి చైనా వెళ్లాలని ఎప్పుడూ లేదు. చిలకలూరిపేట దాటి అవతలికి వెళ్లాలన్నా ఆయనకి బద్ధకమే. కానీ పూర్వం చైనాలో రాజులు ఒకళ్లనొకళ్లు ఎలా ముంచుకున్నారో మాత్రం ఆయనకి తెలిసినంతగా మా మండలంలో ఎవరికీ తెలియదు. చదివి నేర్చుకున్నది కాదు. తెలుగులోకి డబ్బింగ్ అయి మధ్యాహ్నంపూట టీవీలో వచ్చిన సినిమాలు, ఆ తర్వాత ఫోన్లో దొరికిన సినిమాలు, అంతే. సన్న గడ్డం వేలాడేసుకున్న సేనాధిపతి గుర్రం మీంచి "ప్రభూ, శత్రువు మన వలలో చిక్కుకున్నాడు" అని గ్రాంథికంలో గర్జిస్తే, మా నాన్న మంచం మీద పడుకున్నవాడల్లా లేచి కూర్చునేవాడు. వాళ్ల పేర్లు ఆయన నోటికి తిరిగేవి కావు. అందుకని ఎర్రజెండా ఆయన, గడ్డమాయన, ఒంటికన్నాయన అని తనే పేర్లు పెట్టుకున్నాడు. మా మేనమామల గురించి కూడా అంత శ్రద్ధగా ఎప్పుడూ మాట్లాడి ఎరగడు.

"మన తోటలో పురుగు పడి చస్తుంటే తమరు ఎవడి కోటకో కాపలా కాస్తున్నారు. కందకు లేని దురద కత్తిపీటకెందుకండీ?" అనేది అమ్మ.

"నీకు తెలీదు లేవే. వ్యూహం అంటే వ్యూహమే. ఎక్కడైనా పనికొస్తది" అనేవాడు నాన్న.

ఆ పనికొచ్చే విధానం మేం ఒకసారి కళ్లారా చూశాం. పక్క పొలం వాళ్ల గేదెలు మా చేలో పడుతున్నాయని, సినిమాలో చూసినట్టు గట్టు పొడుగునా గడ్డిబొమ్మల సైన్యాన్ని నిలబెట్టాడు. పాత చొక్కాలు తొడిగాడు, తలపాగాలు చుట్టాడు. శత్రువు దూరం నుంచి చూసి జడుసుకోవాలట. గేదెలు ఏమాత్రం జడుసుకోకుండా దగ్గరికొచ్చి, రెండోరోజుకల్లా సైన్యం మొత్తాన్నీ మేసేశాయి. చొక్కాలు మాత్రం వదిలేశాయి.

ఇదంతా మాకు నవ్వులాటగానే ఉండేది, అక్క పెళ్లి మాటలు వచ్చేదాకా. అక్క మంగళగిరిలో ఒక ఆఫీసులో పనిచేసేది. అక్కడే ఒకబ్బాయిని ఇష్టపడింది. వాళ్లది అద్దంకి. రెండిళ్లలోనూ ఒప్పించడానికి ఏడాదిపాటు వాళ్లిద్దరూ పడని పాట్లు లేవు. చివరికి అందరూ దిగొచ్చారు, అబ్బాయి తల్లి తప్ప. ఆవిడ చెడ్డమనిషి కాదు. కానీ తుమ్మితే ఆగే మనిషి. పిల్లి ఎదురైతే కారు వెనక్కి తిప్పించే మనిషి. "ఇంటికొచ్చి చూస్తాను. అన్నీ శుభంగా కనబడితే సరే. లేదంటే ఈ మాట మళ్లీ ఎత్తొద్దు" అని కొడుకుతో ఖచ్చితంగా చెప్పేసింది. అక్క వారంరోజులుగా సరిగ్గా అన్నం తినలేదు.

అబ్బాయీ అక్కా ఎలాగూ రోజూ చూసుకుంటున్నవాళ్లే కాబట్టి, పెద్దవాళ్లిద్దరే వస్తామన్నారు. ఆదివారం సాయంత్రం అనుకున్నాం. ఆ ఆదివారం పొద్దున్నే ఆకాశం నల్లబడింది. కల్లంలో మిరపకాయలు ఎండుతున్నాయి. చినుకు పడితే ఏడాది కష్టం బూజు పట్టిపోతుంది. అమ్మ కళ్లాపి చల్లి, ముగ్గు వేయబోతూ వేయబోతూ డబ్బా అక్కడే పడేసి కల్లానికి పరుగెత్తింది. వెనకే అక్క, తలకి తువ్వాలు చుట్టుకుని, నాన్న పాత చొక్కా తొడుక్కుని. కూలీలతో కలిసి కాయలు పోగుచేసి పట్టాలు కప్పుతున్నారు. ఇంకో పట్టా తెమ్మని నన్ను ఇంటికి పంపారు. నేను వచ్చేసరికి నాన్న ఫోను చెవికి పెట్టుకుని వసారాలో నిలబడి ఉన్నాడు.

"సాయంత్రం దుర్ముహూర్తం ఉందంట. ఇప్పుడే వస్తున్నారు. చిలకలూరిపేట దాటేశారు" అన్నాడు.

ఇంట్లో పిండివంటల మాట దేవుడెరుగు, పాలు కూడా లేవు. "అమ్మని పిలుచుకొస్తా నాన్నా" అన్నాను.

"ఆగు" అన్నాడు. ఆయన కళ్లలో ఒక మెరుపు కనిపించింది. ఆ మెరుపు నాకు తెలుసు. గడ్డిబొమ్మలప్పుడు చూశాను. "సైన్యం లేదు. శత్రువు గుమ్మంలోకొచ్చాడు. అప్పుడు గడ్డమాయన ఏం చేశాడు? కోట తలుపులు బార్లా తీయించాడు. తనొక్కడే పైన కూర్చుని నిబ్బరంగా వీణ వాయించాడు. అవతలోళ్లు బిత్తరపోయారు. మనం కంగారుపడితే లోకువైపోతామే. లేనోడు నిబ్బరంగా ఉంటేనే, వీళ్ల దగ్గరేదో ఉందనుకుంటారు."

"పోనీ టీ అన్నా పెట్టనా?"

"గడ్డమాయన శత్రువుకి టీ ఇచ్చాడా?"

తలుపులూ కిటికీలూ అన్నీ తెరిపించాడు. నన్ను లోపల గదిలో కూర్చోబెట్టి చప్పుడు చేయొద్దన్నాడు. తెల్లపంచె కట్టుకుని, ఒంటరిగా వసారాలో కుర్చీ వేసుకున్నాడు. ఇక వీణ కావాలి. ఆయన ఫోన్లో నిబ్బరంగా వినిపించేది ఒక్కటే ఉంది. గంభీరమైన గొంతుతో ఒక్కో శ్లోకమూ, దాని వెనకే తాత్పర్యమూ వచ్చే ఆ పాత రికార్డు. ఆయన రోజూ స్నానం చేస్తూ వింటాడు. స్పీకర్‌కి కలిపి సౌండు పెంచాడు. మా ఇంట్లో తెల్లారేదే దాంతో కాబట్టి నా చెవికి తేడా తెలియలేదు.

కారు వచ్చి ఆగింది. కిటికీ సందులోంచి చూశాను. అబ్బాయి తల్లి పట్టుచీర కుచ్చిళ్లు సర్దుకుంటూ దిగి, ముగ్గులేని వాకిలి చూసింది. బార్లా తీసిన తలుపులు చూసింది. శ్లోకం విన్నది. గేటు పట్టుకుని అక్కడే ఆగిపోయింది. అబ్బాయి తండ్రి ఒక్కడే నెమ్మదిగా లోపలికొచ్చి, నాన్న చేతులు రెండూ పట్టుకున్నాడు.

"మన చేతుల్లో ఏముంది బావగారూ. ధైర్యంగా ఉండండి" అన్నాడు.

నాన్న కుర్చీలోంచి లేవలేదు. గడ్డమాయన లాగే చిన్నగా నవ్వాడు. ఆ నవ్వు చూసి పెద్దాయన బెదిరిపోయి, తల వంచుకుని వెనక్కి నడిచాడు. కారు తిరిగి వెళ్లిపోయింది.

"చూశావా? పారిపోయారు!" అని గెలిచినవాడిలా నావైపు తిరిగాడు నాన్న. మాట పూర్తయ్యేసరికి మొహం మారింది. సినిమాలో శత్రువు పారిపోవాలి నిజమే. వియ్యంకుడు పారిపోతే ఎలా?

కబురు తెలిసి అమ్మా అక్కా పరుగెత్తుకొచ్చారు. జరిగింది చెప్పాను. అమ్మ ఒకటే అడిగింది. "పోతూ పోతూ వెళ్లొస్తామన్నారా?"

"లేదు."

"చావింటి నుంచేగా అట్టా చెప్పకుండా పోయేది" అని, స్పీకర్ వంక చూసి నెత్తి కొట్టుకుంది. "ఆ శ్లోకాలు ఎక్కడ పెడతారండీ? శవం లేచిందాకా మైకులో పెట్టేవేగా అవి!"

నాన్న వెంటనే ఫోన్ చేశాడు. ఎత్తలేదు. మళ్లీ చేశాడు. ఎత్తలేదు. "నా చేతులారా నా బిడ్డ పెళ్లి చెడగొట్టుకున్నానే" అని అరుగు మీద కూలబడ్డాడు. ఆయన్ని అలా చూడటం అదే మొదటిసారి. అప్పటిదాకా నాకు కోపంగా ఉంది. ఆ మాటతో కోపం పోయి భయం వేసింది. అక్క అప్పటికే తాళంచెవి అందుకుంది. స్కూటీ తీసింది. నేను వెనక ఎక్కాను.

మా ఊరి రోడ్డు హైవేలో కలిసే ముందు మొక్కజొన్న చేలో ఒక బోరు ఉంది. అక్కడ కారు ఆగి ఉంది. ఫోన్లు ఎత్తకపోవడానికి కారణం కూడా అక్కడే ఉంది. మైల ఇంటిదాకా మోసుకెళ్లలేని నిష్ఠ కదా! అబ్బాయి తండ్రి చొక్కాతో సహా నిలువునా తడిసి ఉన్నాడు. తల్లి పట్టుచీరతోనే తల పైపు కింద పెట్టింది.

అక్క స్కూటీ పడేసి పరుగెత్తింది. కల్లంలో ఘాటుకి కళ్లు చింతనిప్పులయ్యాయి, ముక్కు కారుతోంది. ఆవిడ ఫోటోలో చూసిన మొహాన్ని గుర్తుపట్టి గబగబా వచ్చి అక్కని వాటేసుకుంది. "ఏడవకు తల్లీ, ఏడవకు. పోయినోళ్లతో మనమూ పోలేం కదా."

"ఏడవట్లేదండీ. మిరపకాయలు" అంది అక్క.

చెప్పేసరికే ఆలస్యమైంది. అక్క చొక్కాకున్న కారం ఆవిడ మొహానికి అంటుకుంది. ఆవిడా బావురుమంది. ఇద్దరూ కళ్లు కనిపించక ఒకరి చేయి ఒకరు పట్టుకుని తడుముకుంటూ మళ్లీ పైపు కిందికే వెళ్లారు.

"మరి పోయిందెవరమ్మా?" అని అడిగాడు పెద్దాయన.

"ఎవరూ పోలేదండీ. మా నాన్న చైనా సినిమా చూశాడు" అంది అక్క.

అక్షరాలా నిజమే చెప్పింది, కానీ ఎవరికి అర్థమవుతుంది? నేను మొదటినుంచీ చెప్పుకొచ్చాను. మబ్బు, పట్టాలు, గడ్డమాయన, వీణ. పెద్దాయనకి నవ్వాగలేదు. "నేను ధైర్యం చెప్తుంటే నవ్వాడే! దుఃఖం తలకెక్కిందనుకున్నా పాపం!" అని కారు మీదికి ఒరిగిపోయాడు.

ఆవిడ నవ్వలేదు. "ఏదైతేనేం, మంచిపనికి బయల్దేరి వెనక్కి తిరిగాం. మధ్యలో తలస్నానం కూడా అయింది. ఇంతకన్నా శకునం ఏం కావాలి?" అంది.

"శకునాల సంగతి నాకు తెలీదండీ. మా నాన్న తప్పు చేశాడు. నవ్వండి, తిట్టండి. కానీ మీరిట్టా వెళ్లిపోతే మళ్లీ రారు. నాకు మీ అబ్బాయి కావాలి. అందుకే ఇట్టా వచ్చాను" అంది అక్క.

ఆవిడ అక్కని పైనుంచి కిందికి చూసింది. మగచొక్కా, నెత్తిన తువ్వాలు, ఒళ్లంతా నీళ్లు. బోరు మోటారు కొట్టుకుంటూనే ఉంది.

"చావు లేని ఇంటికెళ్లొచ్చి చేసిన స్నానం మైలస్నానం ఎట్టా అవుద్ది?" అంది చివరికి, తనలో తను అనుకుంటున్నట్టు. ఆ తర్వాత అక్క నెత్తి మీది తువ్వాలు తీసి, తడిజుట్టు వెనక్కి తోసింది. "పెళ్లికి ముందు చేసేది మంగళస్నానమేగా. మాకయింది. నీకూ అయింది. పద మీ ఇంటికి."

వారంరోజులుగా బిగబట్టుకున్నదంతా అప్పుడు తెగింది. అక్క ఆవిడ భుజం మీద తల పెట్టి వెక్కివెక్కి ఏడ్చింది.

"ఇంకా మండుతున్నాయా తల్లీ?" అని అడిగింది ఆవిడ, తడికొంగు పిండి కళ్లొత్తుతూ.

"మండుతున్నాయండీ" అంది అక్క.